శంకర్‌కి, పుస్తకాల మూట గురించి

ప్రియమైన శంకర్,

మొన్న ఫోన్‌లో "ఆదివారం అబిడ్స్ పోతున్నా, ఏమేం పుస్తకాలు కావాలో పేర్లు పంపు" అన్నావు. పేర్లే అయితే వాట్సాప్‌లో పెట్టడం రెండు నిమిషాల పని. కానీ ఏ పుస్తకం ఎవరి చేతికి పోతుందో తెలిసి నువ్వు కొనాలని నా కోరిక. అందుకే స్కూల్ నుంచి వచ్చి, చాయ్ తాగి, ఇట్లా కూర్చున్నా.

ఊరివాళ్ల కోసం నేను నడిపే మా పుస్తకాల గదిని నువ్వు చూసి రెండేళ్లయింది కదా. నాన్న ఉన్నప్పుడు వడ్ల బస్తాలు వేసిన గదే. ఇప్పుడు రెండు ఇనుప బీరువాలు, ఒక బల్ల, నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు. సాయంత్రం ఆరు నుంచి ఎనిమిది దాకా తెరిచి ఉంచుతా. ఏడెనిమిది మంది వస్తారు, వానాకాలం నాట్లప్పుడు ఇద్దరు ముగ్గురే. మొదటి ఏడాది నాకు మంచివనిపించిన పుస్తకాలే తెచ్చి పెట్టాను. రిజిస్టర్ తిరగేస్తే ఆరు నెలల్లో ఇరవై పేర్లు కూడా లేవు. ఆ తప్పు నాదే.

అప్పట్లో ఒక ఆటో తమ్ముడు వచ్చాడు. రాత్రిపూట నకిరేకల్ సెంటర్‌లో బండి పెట్టుకుంటాడు, పదో తరగతి దాకా చదివాడు. "సార్, నిజంగా జరిగిన హత్యల పుస్తకాలు ఉన్నయా?" అని అడిగాడు. "అసొంటివి ఇక్కడ ఉండవు తమ్మీ" అన్నాను. తల ఊపి వెళ్లిపోయాడు. మూడు నెలలు ఈ దిక్కు రాలేదు. శంకర్, ఆ మాట గుర్తొస్తే ఇప్పటికీ మనసు కలుక్కుమంటుంది. చదువుతానని తనంతట తాను వచ్చిన మనిషిని గడప దగ్గరే ఆపేశాను.

తర్వాత నేనే వెతుక్కుంటూ పోయి, "నేరాల పుస్తకం ఒకటుంది, ఇంగ్లిష్‌లో ఉంది, రోజూ కొంత చదివి నీకు చెప్తా" అన్నాను. మెడోస్ టేలర్ రాసిన 'కన్ఫెషన్స్ ఆఫ్ ఎ థగ్'. 1839లో వచ్చింది. నవలే, కానీ నిజం థగ్గుల, అంటే బాటసారులను చంపి దోచుకునే ముఠాల వాళ్ల, వాంగ్మూలాల ఆధారంగా రాసింది. అమీర్ అలీ అనే థగ్గు ఒక దొరకు తన కథ తానే చెప్పుకుంటాడు. టేలర్ నిజాం కొలువులో పనిచేసిన మనిషి, తర్వాత షోరాపూర్‌లో చాలా ఏళ్లు ఉన్నాడు. మన నారాయణపేట దాటి, యాద్గిర్ అవతల ఉంటుందే, ఆ షోరాపూరే. అంటే అదంతా ఎక్కడో సముద్రాల అవతల కథ కాదు, మన బాటల మీది కథ.

రోజూ సాయంత్రం ఒక పావుగంట చెప్పేవాణ్ని. బాటసారులతో థగ్గులు ఎట్లా కలుస్తారో, రోజుల తరబడి తోడు నడిచి ఎట్లా నమ్మిస్తారో, ఒక్క రుమాలుతో ప్రాణం ఎట్లా తీస్తారో, గుంత తీసి ఎట్లా పూడ్చేస్తారో. వింటున్నంత సేపూ ఆ తమ్ముడు కుర్చీ అంచున కూర్చుని, ఆటో తాళంచెవిని వేళ్ల మధ్య తిప్పుతుండేవాడు. ఒకరోజు తిప్పడం ఆపి అడిగాడు: "సార్, ఆ చచ్చిపోయినోళ్ల ఇంట్లోళ్లకు ఎవరు చెప్పి ఉంటరు? ఎన్నేండ్లు ఎదురు చూసి ఉంటరు?" నాకు నోట మాట రాలేదు. ఆ పుస్తకాన్ని నేను రెండుసార్లు చదివాను, ఆ ప్రశ్న ఒక్కసారీ రాలేదు. రాత్రి ఒంటిగంటకు ముక్కూ మొహం తెలియని మనిషిని ఎక్కించుకుని ఊళ్లకు తీసుకుపోయే వాడికి వచ్చింది. నేరాల పుస్తకాలు చదివేవాళ్లకు రక్తం చూడాలనే సరదా అని మనం అనుకుంటాం చూడు, అది పూర్తిగా తప్పు. వాళ్లలో చాలామంది భయాన్ని అర్థం చేసుకోవడానికి చదువుతారు.

అందుకే నీకు ఒక పని చెప్తున్నా. అబిడ్స్ ఫుట్‌పాత్ మీద ట్రూమన్ కపోటీ రాసిన 'ఇన్ కోల్డ్ బ్లడ్' పాత కాపీ దొరికితే తీసుకో. అమెరికాలో, కాన్సస్ రాష్ట్రంలో, 1959 నవంబరులో ఒక రైతు ఇంట్లో నలుగురిని చంపిన కేసు అది. ఆ ఇంట్లో డబ్బుల పెట్టె ఉందని ఎవరో చెప్తే నమ్మి ఇద్దరు పోయారు, పెట్టె లేనే లేదు. ఆ పుస్తకంలో నాకు నచ్చింది ఏమిటంటే, చనిపోయిన వాళ్ల చివరి రోజును ఓపికగా చెప్తాడు. ఆ ఇంటి ఆడపిల్ల పక్కింటి పాపకు వంట నేర్పడం దాకా ఉంటుంది. వాళ్లు మనకు ముందు మనుషులుగా తెలుస్తారు, శవాలుగా తర్వాత. అయితే చివర్లో శ్మశానంలో జరిగినట్టు రాసిన సన్నివేశం రచయిత కల్పించిందేనని తర్వాత తేలింది. మా తమ్ముడికి చెప్పేటప్పుడు ఈ సంగతి కూడా చెప్తాను. నిజం అని అట్ట మీద వేసుకున్న పుస్తకం నిజమే చెప్పాలి.

ఇక అసలు సంగతి. థగ్గుల కథ అయిపోయాక వాడికి వట్టికోట ఆళ్వారుస్వామి 'జైలు లోపల' ఇచ్చాను. తెలుగు పుస్తకం, చిన్నది, సొంతంగా చదువుకున్నాడు. జైల్లో ఆళ్వారుస్వామి చూసిన ఖైదీల కథలు. దొంగతనం చేసినవాళ్లు, హత్య చేసినవాళ్లు, వాళ్లు ఎందుకట్లా అయ్యారో, వాళ్లకు ఇల్లూవాకిలీ ఏమిటో. రెండు రాత్రుల్లో చదివేసి తెచ్చాడు. "ఈయన మన నకిరేకల్ పక్కన మాదారంలో పుట్టిండు" అన్నాను. నమ్మలేదు! తక్కువ కులమో పెద్ద కులమో అని అడగలేదు, ఏం చదివిండని అడిగాడు. ఒక టీచర్ ఇంట్లో వంట చేస్తూ చదువుకున్నాడనీ, హోటల్లో పనిచేశాడనీ, 1938లో సికింద్రాబాద్‌లో దేశోద్ధారక గ్రంథమాల పెట్టి, పుస్తకాల మూట మోసుకుని తిరిగి అమ్మాడనీ చెప్పాను. వాడు చాలాసేపు బీరువా వైపు చూస్తూ కూర్చున్నాడు.

ఆ మాటల్లోనే నిజామాబాద్ జైలు వచ్చింది. దాశరథి, ఆళ్వారుస్వామి అక్కడ కలిసి ఉండటం, దాశరథి పళ్లు తోముకునే బొగ్గుతో గోడ మీద పద్యాలు రాయడం నీకు తెలిసిందే. "ఆ పద్యాలు ఇక్కడ ఉన్నయా సార్?" అన్నాడు. 'అగ్నిధార' తీసి ఇచ్చాను. దాన్ని దాశరథి ఆళ్వారుస్వామికే అంకితం ఇచ్చాడని చూపించాను. హత్యల కథలు అడిగిన మనిషి పద్యాల పుస్తకం చొక్కా లోపల పెట్టుకుని పోయాడు, బయట తుంపర పడుతోంది కాబట్టి. ఆ కాపీ అప్పటి నుంచి ముగ్గురి చేతులు మారి కుట్టు ఊడిపోయింది. ఇంకొకటి కావాలి, మర్చిపోకు.

ఇక మా అత్తమ్మ. ఆమెది బిజినేపల్లి దగ్గర పల్లె, అక్షరం రాదు. పండక్కి వచ్చి నెల రోజులు ఉంది. చింతపండు గింజ తీస్తుంటే మా ఆవిడ పక్కన కూర్చుని పాకాల యశోదారెడ్డి 'మా వూరి ముచ్చట్లు' చదివి వినిపించింది. యశోదారెడ్డి పుట్టింది బిజినేపల్లిలోనే. రెండు పేజీలు కాగానే అత్తమ్మ చేతిలో రాయి ఆగింది. "అట్ల సదువొద్దే, గట్ల అనరు మా దిక్కు" అని, అదే మాటను పాలమూరు యాసలో దీర్ఘం తీసి పలికింది. మా ఆవిడ మళ్లీ చదివింది, ఆమె మళ్లీ దిద్దింది. సాయంత్రానికి చింతపండు సగం అట్లాగే ఉంది. అదే రచయిత్రి 'ఎచ్చమ్మ కథలు' ఎక్కడన్నా కనబడితే ధర చూడకుండా తీసుకో. దసరాకు అత్తమ్మ మళ్లీ వస్తుంది.

కవిత్వం రాసే డిగ్రీ అమ్మాయి ఒకతి వస్తుంది. "సార్, మన దిక్కు కవులు తక్కువ కదా" అంది ఒకరోజు. సురవరం ప్రతాపరెడ్డికి కూడా ఈ మాటే గుచ్చుకుంది కదా! తెలంగాణలో కవులే లేరన్నందుకు 1934లో 354 మంది కవులతో 'గోల్కొండ కవుల సంచిక' అచ్చు వేశాడు. ఆ అమ్మాయికి అది చూపించాను. మన జిల్లా ఊళ్ల పేర్లు వేలుపెట్టి వెతుక్కుంది. ఆమెకు గోరటి వెంకన్న 'వల్లంకి తాళం' కొను. 2021కి సాహిత్య అకాడెమీ అవార్డు వచ్చిన పుస్తకం, అవార్డు సంగతి పక్కన పెట్టినా ఆమె చెవికి అది కావాలి.

నవలల్లో ఆళ్వారుస్వామిదే 'ప్రజల మనిషి' రెండు కాపీలు. దొరకు ఎదురు నిలిచిన కంఠీరవం గురించి మా రైతులు తమ ఊరి మనిషి గురించి మాట్లాడుకున్నట్టే మాట్లాడుకుంటారు. డిటెక్టివ్ నవలలు పాతవి ఏవైనా నాలుగు. పిల్లల పుస్తకాలు నీ ఇష్టం, అక్షరాలు పెద్దగా ఉండాలి.

ఒక్క జాగ్రత్త. పాత పుస్తకాలు కొనేటప్పుడు పేజీ నంబర్లు చూసుకో. పోయినసారి నేను ఒక షాపులో తెచ్చిన డిటెక్టివ్ నవలలో ఒక ఫారం మొత్తం, పదహారు పేజీలు, లేవు. అవి చివరి ఫారం. రిటైరైన బస్సు డ్రైవర్ ఒకాయన తీసుకుపోయి, మర్నాడు పొద్దున్నే తలుపు కొట్టి "హంతకుడు ఎవరు సార్?" అని అడిగాడు. నాకూ తెలియదు. ఇంకో కాపీ కోసం ఇంకా వెతుకుతున్నాను, ఆయన ఇంకా అడుగుతూనే ఉన్నాడు.

డబ్బులు ఎంతయినా చెప్పు, ఫోన్‌పే చేస్తాను, నువ్వు మొహమాట పడకు. మూట బరువుగా ఉంటే సూర్యాపేట బస్సెక్కి బైపాస్ దగ్గర దిగి ఫోన్ చెయ్యి. మా ఆటో తమ్ముడు వస్తానన్నాడు. పుస్తకాలకు కిరాయి తీసుకోనని ముందే చెప్పాడు.

చెల్లెమ్మను, పిల్లలను అడిగానని చెప్పు.

నీ
యాదగిరి