వార్షిక నివేదిక 2024–25: పండుగలు, వాటర్ పోలో సాయంత్రం, లెక్కలు

గౌరవ సభ్యులకు నమస్కారం.

బుడాపెస్ట్‌లో ఉంటున్న మన తెలుగు కుటుంబాల సంఘం ఈ ఏడాది చేసిన పనుల నివేదికను సర్వసభ్య సమావేశం ముందు ఉంచుతున్నాను. సంఘం ఎందుకు పెట్టుకున్నామో అందరికీ తెలిసిందే కాబట్టి ఆ మాటలు మళ్లీ రాయడం లేదు.

ముందుగా పండుగలు. బతుకమ్మకు తంగేడు, గునుగు ఇక్కడ దొరకవు కదా, ఈసారీ చామంతులతోనే పేర్చాం. హైదరాబాద్ నుంచి వచ్చిన ఇద్దరు అక్కలు తెల్లవారుజామున నాలుగింటికే లేచి కూర్చుని అయిదు వరుసల బతుకమ్మను నిలబెట్టారు. వాళ్లకు ఎంత చెప్పినా తక్కువే. పార్కులో ఆడుకోవడానికి అనుమతి కోసం జూన్‌లో పెట్టిన దరఖాస్తుకు జవాబు పండుగకు రెండు రోజుల ముందు వచ్చింది. అన్ని కాగితాలూ మొదటిరోజే ఇచ్చాం. అయినా ఆ ఆఫీసుకు అయిదుసార్లు తిరిగాం. ప్రతిసారీ కొత్త కౌంటర్, కొత్త ఫారం. ఆ టెన్షన్ మాకు తప్ప ఇంకెవరికీ తెలియకూడదనే గ్రూపులో రాయలేదు, ఇప్పుడు రాస్తున్నాను. సంక్రాంతికి ముగ్గుల పోటీ హాల్లోనే చార్టుల మీద జరిగింది. ఉగాదికి ఊరి నుంచి సూట్‌కేసులో ఎండబెట్టిన వేపపువ్వు తెచ్చిన దంపతులకు, పులిహోర వండిన విద్యార్థి తమ్ముళ్లకు, పంచాంగం చదివిన మాష్టారికి కృతజ్ఞతలు.

ఇక ఈ ఏడాది మనం గర్వంగా చెప్పుకోవాల్సింది నవంబరులో జరిపిన వాటర్ పోలో (కొలనులో ఈదుతూ బంతిని ఎదుటి జట్టు గోల్‌లోకి విసిరే ఆట) సాయంత్రం. దీని గురించి కాస్త వివరంగా రాయనివ్వండి. వచ్చినవాళ్లు మళ్లీ గుర్తు చేసుకుంటారు, రానివాళ్లకు ఏం జరిగిందో తెలుస్తుంది.

ఆలోచన ఉగాది రోజున పుట్టింది. ఇక్కడే పుట్టి పెరుగుతున్న మన పిల్లలు స్కూల్లో ఈత నేర్చుకుంటున్నారు, వాళ్ల ఫ్రెండ్స్ వాటర్ పోలో ఆడతారు, మనం మాత్రం ఇన్నేళ్లుగా ఉంటున్న ఊళ్లో జనం దేనికి ప్రాణం పెడతారో తెలుసుకోకుండా క్రికెట్ స్కోరు చూసుకుంటున్నాం అని ఒక తల్లి అన్నారు. ఆ మాట నాకు గుచ్చుకుంది. హంగరీ జనాభా కోటికి లోపే. పురుషుల వాటర్ పోలోలో ఒలింపిక్ బంగారు పతకాలు మాత్రం తొమ్మిది: 1932, 1936, 1952, 1956, 1964, 1976, 2000, 2004, 2008. ఇన్ని ఇంకే దేశానికీ లేవు. ఆటను వీళ్లు ‘వీజిలబ్ద’ అంటారు, నీటి బంతి అని అర్థం.

మొదట అందరం మార్గరెట్ ద్వీపంలోని హాయోష్ అల్ఫ్రేడ్ కొలనుకు వెళ్లి ఒక లీగ్ మ్యాచ్ చూశాం. ఆ కొలను కథ పిల్లలకు బాగా నచ్చింది. హాయోష్ 1896లో ఏథెన్స్ ఒలింపిక్స్‌లో సముద్రంలో ఈది రెండు బంగారు పతకాలు గెలిచాడు. హంగరీకి తొలి ఒలింపిక్ విజేత ఆయనే. తర్వాత ఆర్కిటెక్ట్ అయి, 1930లో తెరిచిన ఈ కొలనుకు తనే ప్లాను గీశాడు. తాను ఈదిన చలి సముద్రం తర్వాతి తరం పిల్లలకు వద్దనుకున్నాడేమో అని నాకు అనిపించింది.

మ్యాచ్ తర్వాత మన హాల్లో ప్రసంగం. మన సభ్యుల పిల్లలకు ఈత నేర్పే ఒక పెద్దాయన వచ్చారు. ఆయన హంగేరియన్‌లో మాట్లాడితే, ఇక్కడే పీహెచ్‌డీ చేస్తున్న మన చెల్లెలు ఎప్పటికప్పుడు తెలుగులో చెప్పింది. విషయం: వారి అత్తిల అనే వాటర్ పోలో ఆటగాడి జీవితం. పేరు వినగానే పశ్చిమ గోదావరి నుంచి వచ్చిన మన సభ్యుడొకరు, ‘మా అత్తిలి పేరే!’ అని లేచి నిలబడ్డారు. వీళ్లు కూడా మనలాగే ఇంటిపేరు ముందు చెబుతారు కాబట్టి ‘వారి’ ఇంటిపేరు. అప్పుడు మాష్టారు అందుకుని, ‘వారి అంటే నీరే కదమ్మా, వారిధి, వారిజం వినలేదా’ అన్నారు. నీళ్లలో గెలిచిన మనిషి ఇంటిపేరుకు మన భాషలో నీరనే అర్థం ఉందని చెప్పగానే ఆ పెద్దాయన ముఖం వెలిగిపోయింది. జేబులోంచి చిన్న నోట్‌బుక్ తీసి తెలుగు అక్షరాల్లో రాయించుకున్నారు.

ఆటేమిటో తెలియాలి కదా అని ఆయన ముందు కుర్చీ అంచున కూర్చుని కాళ్లు ఆడించి చూపించారు. ఒక్కో జట్టులో గోలీతో కలిపి ఏడుగురు, ఎనిమిదేసి నిమిషాల నాలుగు క్వార్టర్లు. కొలను అడుగున కాలు మోపకూడదు. గోలీకి తప్ప ఎవరికీ రెండు చేతులతో బంతి పట్టే వీల్లేదు. మరి నీళ్లలో నడుము పైదాకా ఎలా లేస్తారు? రెండు మోకాళ్లూ వెడల్పుగా పెట్టి, ఒక కాలు ఒకవైపు, రెండో కాలు దానికి ఎదురుగా, రెండు కవ్వాలు ఒకేసారి తిప్పినట్టు తిప్పుతూనే ఉండాలి. పిల్లలంతా కుర్చీల అంచుకు జరిగి అలా తిప్పడం మొదలుపెట్టారు. హాలంతా కుర్చీల కిర్రుకిర్రు. రెండు నిమిషాలకే అందరి తొడలూ నొప్పి. ‘ఇది ముప్పై రెండు నిమిషాలు, మధ్యలో ఎదుటివాడు మిమ్మల్ని ముంచుతుంటాడు’ అన్నారాయన.

వారి అత్తిల 1976లో పుట్టారు. 2000కు ముందు హంగరీ వాటర్ పోలోలో చివరిసారి ఒలింపిక్ బంగారం గెలిచింది కూడా ఆ ఏడాదే, మాంట్రియల్‌లో. అప్పటి కోచ్ ద్యర్మతి దెజో. ఆటగాడిగా వరసగా అయిదు ఒలింపిక్స్‌లో అయిదు పతకాలు, అందులో మూడు బంగారం గెలిచిన మనిషి ఆయన. 1956లో మెల్‌బోర్న్‌లో సోవియట్ జట్టుతో నెత్తురు కారేంత గొడవగా జరిగిన మ్యాచ్‌లోనూ ఆడారు. తర్వాత 1990లో పార్లమెంటు సభ్యుడు కూడా అయ్యారు. ఆ మాంట్రియల్ తర్వాత ఇరవై నాలుగేళ్లు బంగారం లేదు. ఇంతటి పేరున్న దేశంలో ఇరవై నాలుగేళ్లంటే ఒక తరం పిల్లలు పెద్దల నోట విన్న కథలతోనే పెరిగారన్నమాట.

1997లో కెమేన్ దేనెష్ జాతీయ కోచ్ అయ్యారు. చదువు రీత్యా ఆయన పశువైద్యుడు. ఆయన జట్టు 2000లో సిడ్నీ ఫైనల్లో రష్యాను 13–6తో ఓడించింది. ఆ జట్టులో వారి ఉన్నారు. 2003లో బార్సెలోనాలో ప్రపంచ విజేతలయ్యారు. 2004 ఏథెన్స్ ఫైనల్లో సెర్బియా మాంటెనెగ్రో మీద మూడో క్వార్టర్ అయ్యేసరికి 5–7తో వెనకబడి ఉన్నారు. చివరి క్వార్టర్‌లో మూడు గోల్స్ వేసి, ఒక్కటి కూడా ఇవ్వకుండా 8–7తో గెలిచారు. ఈ ముక్క చెబుతున్నప్పుడు పెద్దాయన కుర్చీలోంచి లేచిపోయారు. అనువాదం చేస్తున్న మన చెల్లెలు కూడా తెలుగు మరిచిపోయి హంగేరియన్‌లోనే అరిచింది. ఎవరికీ అర్థం కాకపోయినా అందరూ చప్పట్లు కొట్టారు.

రెండు ఒలింపిక్ బంగారాలు చాలవా? అక్కడితో ఆగిపోయినా వారి అత్తిల పేరు నిలిచేది. నన్ను కదిలించింది ఆ తర్వాతి కథ. కోచ్ కెమేన్ మూడు ఒలింపిక్స్ గెలిపించాక 2012లో హంగరీ వాటర్ పోలో సమాఖ్య అధ్యక్షుడయ్యారు. ఆరేళ్లు చేశారు. 2018లో ఆయన తర్వాత ఆ కుర్చీలో కూర్చున్నది ఒకప్పుడు ఆయన చెప్పినట్టు కొలనులో ఆడిన శిష్యుడు వారి. అధ్యక్షుడు గోల్ వేయడు. కోచ్ ఎవరో, జూనియర్లకు కొలను ఏ గంటల్లో దొరుకుతుందో, డబ్బు ఎక్కణ్ణుంచి వస్తుందో చూసుకుంటాడు. గెలిచినప్పుడు ఫోటోలో టోపీలు పెట్టుకున్న ఆటగాళ్లు ఉంటారు. ఓడితే ప్రశ్నలు ఆ కుర్చీకి వస్తాయి. మెడలో రెండు బంగారాలు వేసుకున్న మనిషి ఆ పనికి ఒప్పుకోవడమే నాకు పెద్ద విషయంగా కనిపించింది. సంఘం పనులు చేసినవాళ్లకు నేను చెప్పేది అర్థమవుతుంది.

ఆయన అధ్యక్షుడిగా ఉండగా జాతీయ కోచ్ మెర్త్స్ తమాష్. సిడ్నీలో ఇద్దరూ ఒకే జట్టు. 2020 జనవరిలో డాన్యూబ్ ఒడ్డున ఉన్న దూనా అరేనాలో యూరోపియన్ ఫైనల్, స్పెయిన్‌తో. 9–9 సమం. పెనాల్టీల్లో గెలిచారు. 1999 తర్వాత హంగరీకి అదే తొలి యూరోపియన్ టైటిల్. అప్పుడే ఇక్కడికి వచ్చిన మా కుటుంబం ఆ రాత్రి వీధిలో కార్ల హారన్లు విని ఏదో గొడవ అనుకుని తలుపులు వేసుకుంది. ఇన్నాళ్లకు ఈ ప్రసంగం విన్నాకే ఆ హారన్లు ఎందుకో తెలిసింది.

అదే ఏడాది కోవిడ్ వచ్చింది. ఒలింపిక్స్ వాయిదా పడ్డాయి. జూన్‌లో బెనెదెక్ తిబోర్ నలభై ఏడేళ్లకే క్యాన్సర్‌తో చనిపోయారు. ఆయన వారితో కలిసి సిడ్నీ, ఏథెన్స్ గెలిచిన ఆటగాడు, 2013లో కోచ్‌గా హంగరీని ప్రపంచ విజేతను చేసిన మనిషి. ఇక్కడికి వచ్చేసరికి పెద్దాయన కాసేపు మాట్లాడలేదు. మన చెల్లెలు కూడా ఏమీ చెప్పకుండా నిలబడింది.

2021లో టోక్యోలో పురుషులు స్పెయిన్‌ను 9–5తో ఓడించి కంచు పతకం తెచ్చారు. మన ఆడపిల్లలందరూ గుర్తుపెట్టుకోవాల్సింది మాత్రం రెండో పతకం. హంగరీ మహిళల జట్టు 2008, 2012, 2016 మూడు ఒలింపిక్స్‌లోనూ నాలుగో స్థానంలో నిలిచింది. మూడుసార్లు గుమ్మం దాకా వచ్చి వెనక్కి వెళ్లడం! టోక్యోలో రష్యన్ జట్టును 11–9తో ఓడించి కంచు గెలిచారు. ఒలింపిక్స్ వాటర్ పోలోలో ఈ దేశపు మహిళలకు అదే తొలి పతకం. ప్రశ్నల సమయంలో తొమ్మిదేళ్ల పాప, ‘మూడుసార్లు నాలుగో ప్లేస్ వచ్చాక కూడా ఎందుకు మానలేదు?’ అని అడిగింది. పెద్దాయన, ‘పొద్దున్నే కొలను తలుపు తీసేవాళ్లు మానలేదు కాబట్టి’ అన్నారు. ఆ జవాబు నా డైరీలో రాసుకున్నాను.

ఈ కార్యక్రమం తర్వాత మన పిల్లలు ఆరుగురు ఈతలో చేరారు, ఇద్దరు వాటర్ పోలో జూనియర్లకు వెళ్తున్నారు. పెద్దల్లో కూడా గోదావరి ఒడ్డున పుట్టి ఈత రాని ఒక అన్నయ్య యాభై రెండేళ్లకు నేర్చుకోవడం మొదలుపెట్టారు. ప్రసంగం చేసిన పెద్దాయనకు, అనువాదం చేసిన చెల్లెలికి, మ్యాచ్ టికెట్లు చూసిపెట్టిన దంపతులకు, మిరపకాయ బజ్జీలు వేసిన వదినలకు, డెబ్రెట్సెన్ నుంచి రైల్లో వచ్చి ప్రొజెక్టర్ చూసుకున్న వైద్య విద్యార్థులకు సంఘం ఋణపడి ఉంది.

ఇక ఒక బాధ కూడా రాయాలి. ఆ సాయంత్రానికి వాలంటీర్లు కావాలని గ్రూపులో పెడితే ఇరవై మూడు మంది బొటనవేలు గుర్తు పెట్టారు. వచ్చింది నలుగురు. మధ్యాహ్నం ఎనభై కుర్చీలు వేసింది, రాత్రి పదకొండింటికి వాటిని మళ్లీ దొంతరలు పేర్చింది ఆ నలుగురే. వాళ్లలో ఒకరికి మర్నాడు పొద్దున ఆరింటికి డ్యూటీ ఉంది. రాలేకపోతే రాలేమని ఒక్క మాట చెప్పండి, ఎవరూ తప్పు పట్టరు. చెప్పకుండా మానేస్తే ఆ పని వచ్చినవాళ్ల నడుం మీద పడుతుంది. కమిటీ సభ్యుల్లోనూ ముగ్గురు ఈ ఏడాది ఒక్క సమావేశానికీ రాలేదు. వాళ్ల పేర్లు ఇక్కడ రాయడం లేదు.

లెక్కలు: సభ్యత్వ రుసుములు, విరాళాలు కలిపి వచ్చినదంతా ఎక్కువగా హాల్ అద్దెకు, పండుగ భోజనాలకు ఖర్చయింది. జమాఖర్చుల పట్టికను కోశాధికారి నోటీసుతో పాటు పంపారు, ఇద్దరు సభ్యులు రసీదులతో సరిచూశారు. కొద్దిగా మిగులు ఉంది. రుసుము బాకీ ఉన్నవాళ్లు సమావేశం లోపు కట్టాలని మనవి.

వచ్చే ఏడాదికి కార్యదర్శి, సహ కార్యదర్శి, పిల్లల కార్యక్రమాల బాధ్యుడు, ఈ మూడు పదవులకు పేర్లు కావాలి. నేను రెండేళ్లు చేశాను, నిబంధన ప్రకారం తప్పుకుంటున్నాను. కొత్తగా వచ్చేవారితో మొదటి మూడు నెలలు కలిసి పనిచేస్తాను. పార్కు అనుమతి ఫైలు, హాల్ తాళాలు, మైకు, రెండు పెద్ద పులిహోర గిన్నెలు మా ఇంట్లోనే ఉన్నాయి. సమావేశం రోజు తీసుకొస్తాను. హాల్ నాలుగింటికి తెరుస్తాం, కుర్చీలు వేయడానికి మూడున్నరకే రాగలిగినవాళ్లు నాకు ఫోన్ చేయండి.

నివేదికను సభ ఆమోదం కోసం సమర్పిస్తున్నాను.

ఇట్లు,
కార్యదర్శి
బుడాపెస్ట్