శాలువా ఫోటో కింద ఎవరి మాటలు?

సంపాదకులకు నమస్కారం.

మా అమ్మ తిరుపతిలోని ఒక ఆసుపత్రిలో 19 ఏళ్లు కాంట్రాక్టు ఆయాగా చేసి పోయినేడు మానేసింది. మొన్న ఆదివారం ఆమెను పక్కన కూర్చోబెట్టుకుని ల్యాప్‌టాప్‌లో ఒక డాక్యుమెంటరీ చూపించాను. అమెరికాలో మేడ్‌లిన్ ఆండర్సన్ అనే నల్లజాతి మహిళ 1970లో తీసిన ‘ఐ యామ్ సంబడీ’. అరగంట సినిమా. అమ్మకు ఇంగ్లీషు రాదు, ఆపి ఆపి తెలుగులో చెప్తూ వచ్చాను.

1969లో సౌత్ కరోలినా రాష్ట్రం చార్ల్‌స్టన్‌లో సుమారు 400 మంది ఆసుపత్రి కార్మికులు సమ్మె చేశారు. దాదాపు అందరూ నల్లజాతి ఆడవాళ్లే. గంటకు 1.30 డాలర్ల కూలి. యూనియన్ పనిలో ఉన్న 12 మందిని తీసేయడంతో గొడవ మొదలైంది. నేషనల్ గార్డ్ సైనికులు తుపాకులతో వీధుల్లోకి దిగారు, వందల మందిని అరెస్టు చేశారు. అంతకు ఏడాది ముందే భర్త, నల్లజాతి హక్కుల నాయకుడు మార్టిన్ లూథర్ కింగ్‌ను పోగొట్టుకున్న కొరెట్టా స్కాట్ కింగ్ వచ్చి వాళ్లతో కలిసి నడిచింది. వంద రోజులు దాటాక తీసేసినవాళ్లను మళ్లీ తీసుకున్నారు, కూలి పెంచారు. యూనియన్‌కు మాత్రం గుర్తింపు ఇవ్వలేదు.

ఊరేగింపు వచ్చిన చోట అమ్మ నా చెయ్యి పట్టుకుంది. “ఆపు పాపా. ఆ నడక చూడు. పొద్దంతా నిలబడి పనిచేసే కాళ్లమ్మా అయి” అంది.

ఆ దృశ్యాల్లో చాలావరకు అప్పటి టీవీ వార్తల్లోవే. కానీ వెనక వినిపించే గొంతు సమ్మె చేసిన ఒకామెది. బొమ్మలు అవే అయినా ఆమె చెప్తుంటే అర్థమే మారిపోయింది.

సినిమా అయ్యాక అమ్మ లేచి బీరువాలోంచి ఒక పేపరు ముక్క తెచ్చింది. 2020లో కరోనా టైములో ఆమెకు శాలువా కప్పిన ఫోటో. మడతల దగ్గర చిరిగిపోతే లోపలివైపు ప్లాస్టర్ అంటించుకుంది. ఫోటో కింద నాలుగు లైన్లు, నాలుగూ వేదిక మీది పెద్దమనుషులు చెప్పినవే. ఆమెను ఎవరూ ఒక్క మాట అడగలేదు. అడిగుంటే ఏం చెప్పేదానివి అన్నాను. “మూడు నెల్ల జీతం రాలేదని చెప్పుండేదాన్ని” అంది. ఆ మాట నాకే అప్పుడు చెప్పలేదు. ఇంట్లో టెన్షన్ ఎందుకని దాచిందట.

పనిచేసేవాళ్ల కథ వాళ్ల గొంతుతోనే చెప్పించడం మన దగ్గర కాని పనేమీ కాదు. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో డక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అనే స్వచ్ఛంద సంస్థ సంఘాల దళిత మహిళలు కెమెరా నేర్చుకుని, వరంగల్ బీటీ పత్తి రైతుల నష్టాల మీద వాళ్లే సినిమా తీశారు. తిరుపతిలో ఇన్ని కాలేజీలున్నాయి, షార్ట్ ఫిలింలు తీసే పిల్లలకు కొదవే లేదు. తెల్లవారుజామున బస్టాండు చుట్టూ ఊడ్చే ఆడవాళ్ల దగ్గరికి వాళ్లు వెళ్లాలి. వెళ్లి, వెనక వ్యాఖ్యానం తాము రాసుకోకుండా ఆ ఆడవాళ్ల చేతనే చెప్పించాలి.

మీకూ ఒక విన్నపం. జిల్లా పేజీలో ఇలాంటి ఫోటో వేసినప్పుడల్లా అందులో ఉన్న కార్మికురాలి మాట కూడా రెండు లైన్లు వేయండి. మా అమ్మ అయితే మీ విలేకరి ఎవరొచ్చినా మాట్లాడతానంటోంది. కొళాయి నీళ్లు పట్టుకోవాలి కాబట్టి సాయంత్రం 4 తర్వాత రమ్మంది.

– ఒక పాఠకురాలు, జీవకోన, తిరుపతి