వడపోతను కాలయాత్ర అనొద్దు

సంపాదకులు గారికి నమస్కారం.

క్వాంటం కంప్యూటర్ల వార్తలు పెరిగేకొద్దీ ఒక తరహా శీర్షిక పదేపదే కనిపిస్తోంది. 'కాలాన్ని వెనక్కి తిప్పారు', 'గతంలోకి కాంతికణం', 'తాత వైరుధ్యం వీడింది'. ఏదో ఒక పత్రిక అని కాదు, తెలుగులోనూ ఇంగ్లిష్‌లోనూ ఇదే తంతు. ఆ వార్తల వెనకున్న ప్రయోగాలు నిజమైనవే, వాటి గణితం గట్టిదే. కానీ వాటిలో ఏ ఒక్కదానిలోనూ ఏదీ గతంలోకి వెళ్లలేదు. అసలు జరిగింది శీర్షిక కంటే ఆసక్తికరంగా ఉంటుంది కాబట్టే ఈ ఉత్తరం.

భవిష్యత్తులోకి వెళ్లడానికి భౌతికశాస్త్రం అడ్డు చెప్పదు. రేవతిని వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్లిన కకుద్మి తిరిగొచ్చేసరికి భూమ్మీద యుగాలు గడిచిపోయాయన్న పురాణకథ సాపేక్ష సిద్ధాంతం చదివినవాళ్లకు వింతగా అనిపించదు. జీపీఎస్ ఉపగ్రహాల్లోని గడియారాలు నేల మీది గడియారాల కంటే రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. ఆ తేడాను సరిదిద్దుతూనే మన ఫోన్లో మ్యాపు నడుస్తోంది. పేచీ అంతా వెనక్కి వెళ్లడంతోనే.

వెనక్కి వెళ్లే దారి ఐన్‌స్టీన్ సమీకరణాల్లో కాగితం మీదైతే ఉంది. విశ్వమంతా గిరగిరా తిరుగుతోందనుకుంటే, బయల్దేరిన చోటికే, బయల్దేరిన క్షణానికే తిరిగి చేర్చే కాలవలయాలు అందులో ఉంటాయని కర్ట్ గోడెల్ 1949లో చూపించాడు. వార్మ్‌హోల్ (దూరపు చోట్లను కలిపే సొరంగం లాంటిది) ఒక కొసను వేగంగా తిప్పి తెస్తే రెండు కొసల గడియారాలకూ పొత్తు కుదరక అదే కాలయంత్రం అవుతుందని మోరిస్, థోర్న్, యుర్ట్‌సెవెర్ 1988లో రాశారు. అయితే ఆ వార్మ్‌హోల్ మూసుకుపోకుండా ఉండాలంటే రుణశక్తి, అంటే శూన్యం కంటే తక్కువ శక్తి, కావాలి. అలాంటిది మనకు తెలిసిన చోటు కాసిమిర్ 1948లో ఊహించిన ప్రభావం. విద్యుదావేశం లేని రెండు లోహపు పలకలను శూన్యంలో మైక్రోమీటరు దూరంలో ఎదురెదురుగా పెడితే అవి ఒకదాన్నొకటి లాక్కుంటాయి. ఎంత బలంతో? సుమారు 1.3 మిల్లీపాస్కల్. బల్ల మీద పెట్టిన ఒక జెరాక్స్ కాగితం మోపే ఒత్తిడిలో ఆరువందల వంతు! దానితో వార్మ్‌హోల్ నిలబెట్టడం సంగతి చెప్పనక్కర్లేదు. పైగా, కాలవలయం పుట్టబోయే సరిహద్దు దగ్గర శూన్యంలోని క్వాంటం అలజడి హద్దు లేకుండా పేరుకుపోయి ఆ వలయాన్ని పుట్టనివ్వదని 1992లో హాకింగ్ ఊహించాడు. ఆ సరిహద్దు దగ్గర మామూలు క్వాంటం క్షేత్ర సిద్ధాంతమే చెల్లదని 1997లో కే, రాడ్జికోవ్‌స్కీ, వాల్డ్ నిరూపించారు. సిద్ధాంతం చెల్లదంటే యాత్ర కుదరదని అర్థం కాదు. అక్కడేం జరుగుతుందో చెప్పాలంటే గురుత్వాకర్షణకు క్వాంటం సిద్ధాంతం ఉండాలి, అది ఇంకా చేతికి రాలేదు.

కాబట్టి వలయం ఉందో లేదో పక్కనపెట్టి, 'ఉంటే క్వాంటం నియమాలు ఏం చెబుతాయి?' అని అడిగినవాళ్లలో ముఖ్యమైన దారులు రెండు. మొదటివాడు ఆక్స్‌ఫర్డ్‌కు చెందిన డేవిడ్ డాయిచ్, 1991లో. గతంలోకి వెళ్లిన మనవడు తుపాకీతో తాతను చంపితే తానెలా పుడతాడన్న తాత వైరుధ్యం కథనంతా ఆయన ఒక్క బిట్‌కు కుదించాడు. మనవడు ఉంటే 1, లేకపోతే 0. వలయంలో ఒక నాట్ గేటు ఉంది, అది 1ని 0గా, 0ని 1గా మారుస్తుంది. మారిన బిట్ గతానికి వెళ్లి మళ్లీ అదే గేటులోకి దూరాలి. అంటే లోపలికి వెళ్లింది, బయటికొచ్చింది ఒకటే కావాలి. 0తో మొదలుపెడితే 1 వస్తుంది, 1తో మొదలుపెడితే 0. రెండూ కుదరవు. వైరుధ్యమంటే ఇంతే.

డాయిచ్ అన్నదేమిటంటే, సరిపోలాల్సింది బిట్ విలువ కాదు, దాని స్థితి. 1 అయ్యే సంభావ్యత p అనుకోండి. నాట్ గేటు దాటాక అది 1−p అవుతుంది. రెండూ సమానం కావాలంటే p సగం. సగం పాళ్లు మనవడు ఉన్నాడు, సగం పాళ్లు లేడు, లెక్క సరిపోయింది. నాట్ బదులు ఏ గేటు పెట్టినా ఇలా నిలకడగా నిలిచే స్థితి కనీసం ఒకటి దొరికి తీరుతుందని ఆయన నిరూపించాడు. ఇక్కడ శీర్షికల వాళ్లు గమనించని సంగతి ఒకటుంది: ఈ మెట్టు వరకూ క్వాంటం అవసరమే రాలేదు, ఎగరేసిన నాణెం చాలు. క్వాంటం అవసరమయ్యేది, ఆ సగం సగానికి 'ఒక లోకంలో పుట్టినవాడు ఇంకో లోకంలోని తాతను చంపుతాడు' అని డాయిచ్ ఇచ్చిన బహులోక వ్యాఖ్యానం దగ్గర. ఇక నిలకడ స్థితులు చాలా ఉంటే దేన్ని ఎంచుకోవాలి? అత్యధిక ఎంట్రోపీ (అనిశ్చితి) ఉన్నదాన్ని ఎంచుకోమన్నాడు. మనవడు పట్టుకెళ్లిన పద్యాన్నే కవి ఎత్తి రాస్తే, ఆ పద్యం ఎవరూ కట్టకుండానే పుట్టినట్టవుతుంది కదా. ఆ చిక్కును తప్పించడానికే ఈ నియమం.

దీనికి చెల్లించే మూల్యం మాత్రం పెద్దది. డాయిచ్ వలయం గుండా వెళ్లిన క్యూబిట్ (క్వాంటం బిట్) బయట తనతో ముడిపడిన (ఫలితాలు ఒకదానితో ఒకటి పెనవేసుకున్న) జంట క్యూబిట్‌తో సంబంధం తెంచుకుంటుంది. క్వాంటం సిద్ధాంతానికి ప్రాణమైన సరళరేఖీయత (స్థితుల కలయిక మీద జరిగే మార్పు, విడివిడి మార్పుల కలయికే అన్న నియమం) పోతుంది. అది పోతే, ఏ కొలతతోనూ కచ్చితంగా విడదీయలేని రెండు స్థితులను విడదీయొచ్చని బ్రన్, హారింగ్టన్, వైల్డ్ 2009లో చూపారు. అదే జరిగితే క్వాంటం పద్ధతిలో రహస్య తాళంచెవులు పంపుకునే ఏర్పాటంతా కుప్పకూలుతుంది. ఆ వాదన లోపలికి వెళ్లే స్థితి ముందే ఖాయమైందనుకుని చేసిందని, యాదృచ్ఛికంగా ఎంచిన స్థితులకు అది వర్తించదని బెన్నెట్ బృందం అదే ఏడాది తిప్పికొట్టింది. ఆ తగువు ఇంకా తెగలేదు.

రెండో దారి ఎంఐటీకి చెందిన సేత్ లాయిడ్, ఆయన సహచరులది. 2011లో అచ్చయిన వాళ్ల పద్ధతే వార్తల్లోని 'కాంతికణం గతంలోకి' అన్న మాటకు మూలం. ఇందులో ముడిపడిన జంటను తయారుచేసి, చివర కొలిచి, మొదట తయారుచేసిన ముడే మళ్లీ కనబడిన సందర్భాలను మాత్రమే ఉంచుకుంటారు. మిగతావన్నీ పారేస్తారు. ఉంచుకున్నవాటి లెక్కలు చూస్తే, ఒక క్యూబిట్ చివరి నుంచి మొదటికి వెళ్లినట్టే ఉంటాయి. టొరంటోలో స్టైన్‌బర్గ్ బృందం దీన్ని ఒంటరి ఫోటాన్లతో (కాంతికణాలతో) చేసి చూసింది. ఫోటాన్ ధ్రువణం (కాంతి ఊగే దిశ) ఒక క్యూబిట్, అది పోయే దారి ఇంకో క్యూబిట్. తుపాకీ అంటే ధ్రువణాన్ని తిప్పే పలక, హాఫ్ వేవ్ ప్లేటు. దాన్ని తిప్పిన కోణాన్ని బట్టి తుపాకీ పేలే అవకాశం మారుతుంది. ఉంచుకున్న సందర్భాల్లో తుపాకీ పేలలేదు. ఎందుకు పేలలేదు? పేలిన సందర్భాలు వడపోతలో పోయాయి కాబట్టి. బియ్యంలో రాళ్లు ఏరి పారేసి, ఈ బియ్యంలో రాళ్లే ఉండవు అన్నట్టు.

ఇలా చెబితే ప్రయోగాన్ని తేలిక చేసినట్టు అనిపించవచ్చు, నా ఉద్దేశం అది కాదు. డాయిచ్ లెక్కకూ లాయిడ్ లెక్కకూ జవాబులు వేరు. రెండోది బయటి జంటతో సంబంధాన్ని తెంచదు. వలయం అందుబాటులో ఉంటే కంప్యూటర్‌కు వచ్చే బలం కూడా వేరు. డాయిచ్ వలయంతో మామూలు కంప్యూటర్, క్వాంటం కంప్యూటర్ ఒకే స్థాయికి చేరతాయని ఆరన్‌సన్, వాట్రస్ నిరూపించారు. లాయిడ్ వలయం అంతకంటే బలహీనమనే నమ్మకం. ఇవన్నీ కాలయంత్రం గురించి కాదు, క్వాంటం సిద్ధాంతాన్ని ఎంతవరకు లాగితే తెగుతుందో తెలుసుకోవడం గురించి.

మిగతా శీర్షికలదీ ఇదే కథ. 2019లో 'కాలాన్ని వెనక్కి తిప్పిన' మాస్కో బృందం ఐబీఎం యంత్రంలో రెండు, మూడు క్యూబిట్లను కొంత దూరం నడిపి, ఒక ప్రత్యేక గేటు వేసి, మళ్లీ నడిపి మొదటి స్థితికి తెచ్చింది. రెండు క్యూబిట్లతో సుమారు 85 శాతం, మూడింటితో సుమారు సగం సార్లు కుదిరింది. గోడ మీది గడియారం మాత్రం ముందుకే నడిచింది. 2014లో క్వీన్స్‌లాండ్ విశ్వవిద్యాలయం వాళ్లు డాయిచ్ వలయాన్ని జంట ఫోటాన్లతో అనుకరించారు, అది అనుకరణేనని వాళ్ల వ్యాసం శీర్షికలోనే ఉంది. 2023లో కేంబ్రిడ్జ్ నుంచి వచ్చింది సూక్ష్మ కొలతల గురించిన ప్రతిపాదన. అందులో నాలుగింట ఒక్కసారే పని జరుగుతుందని, మిగతా మూడూ వడగట్టాల్సిందేనని రచయితలే చెప్పారు.

ఇది ఎవరైనా సొంతంగా సరిచూసుకోవచ్చు. అమరావతిలో 156 క్యూబిట్ల ఐబీఎం యంత్రం పెడతామని 2025లో ప్రకటించారు. ఈ పనికి అన్ని అక్కర్లేదు, నాలుగు చాలు. 0, 1 అంకెలున్న క్యూబిట్లు ముడి జంట. 2, 3 సాక్షులు: తుపాకీ ముందు ఒకటి, తర్వాత ఒకటి చూస్తాయి. 0 మీద హాడమార్డ్ గేటు (క్యూబిట్‌ను సగం సగం స్థితిలో పెట్టేది), తర్వాత 0 నుంచి 1కి సీనాట్ (మొదటి క్యూబిట్ విలువ 1 అయితే రెండోదాన్ని తిరగేసేది). 1 నుంచి 2కి సీనాట్, ఇది మొదటి సాక్షి. 1 మీద ఆర్‌వై గేటు (ఇచ్చిన కోణం మేర క్యూబిట్‌ను తిప్పేది), ఇదే తుపాకీ. 1 నుంచి 3కి సీనాట్, రెండో సాక్షి. ఆపైన 0 నుంచి 1కి సీనాట్, 0 మీద హాడమార్డ్, నాలుగింటినీ కొలవడం. 0, 1 రెండూ సున్నా వచ్చిన ఫలితాలనే ఉంచాలి. ఇక్కడే చాలామంది బోల్తా పడతారు: ఐబీఎం క్వాంటం యంత్రాలకు ప్రోగ్రాములు రాసే సాఫ్ట్‌వేర్ కిస్కిట్ ఫలితాలను కుడి నుంచి ఎడమకు రాస్తుంది, కాబట్టి ఉంచాల్సింది '00'తో ముగిసేవి, మొదలయ్యేవి కావు.

4000 సార్లు నడిపితే లోపం లేని యంత్రంలో తుపాకీ కోణం సున్నా ఉన్నప్పుడు సుమారు 2000, 90 డిగ్రీల దగ్గర 1000, 120 దగ్గర 500 మిగులుతాయి. మిగిలిన ప్రతిదానిలో సాక్షులిద్దరూ ఒకే మాట చెబుతారు. 180 దగ్గర, అంటే తుపాకీ తప్పకుండా పేలేలా పెడితే, మిగిలేది సున్నా. వైరుధ్యం వీడలేదు, దాని వరస మొత్తం చెత్తబుట్టలోకి వెళ్లింది.

నిజం యంత్రంలో మాత్రం సున్నా రాదు. 180 డిగ్రీల దగ్గర 1వ క్యూబిట్ ఎప్పుడూ 1గానే రావాలి. కొలతలో 2 శాతం తప్పు ఉంటే 4000లో 80 సార్లు అది 0గా నమోదవుతుంది, వాటిలో సగం, అంటే సుమారు 40, వడపోత దాటి వచ్చేస్తాయి. గమ్మత్తేమిటంటే ఆ 40లో సాక్షులు ఒకరికొకరు ఎదురు చెబుతారు, అచ్చం మనవడు తాతను చంపేసినట్టే! ఏ పోటీలోనో విద్యార్థులు ఈ సర్క్యూట్ నడిపి 'వైరుధ్యం 40 సార్లు జరిగింది' అని ప్రకటన పంపితే, మీ డెస్క్ వాళ్లు వాళ్లను రెండే అంకెలు అడగాలి. మొత్తం ఎన్నింటిలో ఎన్ని ఉంచారు? కోణం సున్నా పెట్టినప్పుడు 1వ క్యూబిట్ ఎన్నిసార్లు 1గా వచ్చింది? రెండోది 80కి అటూఇటుగా ఉంటే ఆ నలభైకి కారణం కొలత లోపమే. 80 కంటే కాస్త తక్కువున్నా కంగారు పడనక్కర్లేదు. 1ని 0గా చదవడమే ఎక్కువ జరిగే తప్పు, ఎందుకంటే కొలత పూర్తయ్యేలోపే క్యూబిట్ పై స్థితి నుంచి కిందికి జారిపోతుంటుంది.

భవదీయుడు,
భౌతికశాస్త్రం చదువుకున్న ఒక పాఠకుడు