స్టేషన్ దారి వెలిగిన ఏడాది – 2024–25 వార్షిక నివేదిక

గౌరవనీయులైన అధ్యక్షుల వారికి, కార్యవర్గ మిత్రులకు, సభ్యులందరికీ నమస్కారం. బోనాల వల్ల సర్వసభ్య సమావేశాన్ని ఒక వారం వాయిదా వేశాం. ఇబ్బంది పడ్డవాళ్లు మన్నించాలి.

మన కాలనీల సంఘం ఆశయాలు మీకందరికీ తెలిసినవే కాబట్టి మళ్లీ రాయడం లేదు. నిరుడు ఇదే సమావేశంలో ఒక తీర్మానం చేశాం. మిగతా పనులు కొన్ని ఆగినా సరే, ఈ ఏడాది స్టేషన్ మెట్ల దగ్గర నుంచి మెయిన్ రోడ్డు బస్టాప్ దాకా ఉన్న దారిని మనుషులు నడిచేలా చేయాలని. ఆ దారి మొత్తం రెండు వందల గజాలు కూడా ఉండదు. మా ఏడాదంతా దాని మీదే గడిచింది.

కొత్తగా చేరిన సభ్యుల కోసం కొంచెం వెనక్కి వెళ్తాను. 2003 ఆగస్టు 9న ఎంఎంటీఎస్, అంటే నగరంలో తిరిగే లోకల్ రైళ్లు, మొదలయ్యాయి. మొదటి దశలో ఆ రైళ్లు లింగంపల్లి, నాంపల్లి, ఫలక్‌నుమా వైపే నడిచాయి. మన మేడ్చల్ లైను వాళ్లం 2012–13లో మంజూరైన రెండో దశ కోసం ఎదురు చూశాం. ఖర్చులో మూడింట రెండు వంతులు రాష్ట్ర ప్రభుత్వం, ఒక వంతు రైల్వే పెట్టుకోవాలని ఒప్పందం. సికింద్రాబాద్ నుంచి బొల్లారం దాకా కరెంటు లైను, అక్కడి నుంచి మేడ్చల్ దాకా రెండో ట్రాకు పడి, చివరికి 2023 ఏప్రిల్ 8న పరేడ్ గ్రౌండ్స్ సభలో ప్రధానమంత్రి జెండా ఊపితే మన స్టేషన్‌కు ఎంఎంటీఎస్ వచ్చింది. ఆ రోజు మనం లడ్డూలు పంచాం. సికింద్రాబాద్‌కు ఐదు రూపాయల టికెట్టు! ఇక మన కాలనీల రాత మారిపోతుందనుకున్నాం.

మారలేదు. ప్లాట్‌ఫామ్ కొత్తది, ఫుట్ ఓవర్ బ్రిడ్జి కొత్తది, మెట్లు దిగగానే మాత్రం పాత చెత్తకుప్ప. దాన్ని దాటితే విరిగిన నాలా పలకలు, ఆ తర్వాత చీకటి. మన సభ్యులొకరి అమ్మాయి సికింద్రాబాద్‌లో కోచింగ్‌కు వెళ్లేది. రైలు ఉన్నా, చీకటి పడ్డాక ఆ దారిన నడవలేక, వాళ్ల నాన్న రోజూ బండి వేసుకుని సికింద్రాబాద్ దాకా వెళ్లి తీసుకొచ్చేవారు. ఐదు రూపాయల రైలు ఆ ఇంటికి ఎందుకు పనికిరాలేదంటే రెండు వందల గజాల దారి వల్ల. స్టేషన్ అంటే ప్లాట్‌ఫామ్ ఒక్కటే అనుకుని ఇన్నాళ్లూ అర్జీలన్నీ రైళ్ల గురించే పెట్టాం. అక్కడ పొరపాటు మనదే.

ఆ దారి ఎవరిదో తెలుసుకోవడానికే మూడు నెలలు పట్టింది. మెట్ల నుంచి కంచె దాకా రైల్వే స్థలం. కంచె బయట నాలా ఒక శాఖది, రోడ్డు ఇంకొకరిది, దీపాల స్తంభాలు మరొకరివి. ఒక ఆఫీసులో అడిగితే పక్క ఆఫీసుకు వెళ్లమన్నారు, అక్కడ అడిగితే మళ్లీ మొదటి ఆఫీసుకే పొమ్మన్నారు. ఏ ఆఫీసులో ఏ టేబుల్ అన్నది ఇక్కడ రాయను. సోమవారం జనం ఫిర్యాదులు తీసుకునే ప్రజావాణిలో మేము నాలుగుసార్లు క్యూలో నిలబడ్డాం. నాలుగు రసీదులూ ఫైల్లో ఉన్నాయి. చివరికి సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెడితేనే హద్దుల నకలు చేతికొచ్చింది. ఆ నకలు తీసుకుని మళ్లీ వెళ్తే ఎవరూ కాదనలేకపోయారు. ఈ పనంతా ఓపికగా చేసిన మన ఉపాధ్యక్షులకు ఎన్ని కృతజ్ఞతలు చెప్పినా తక్కువే. రిటైరైన మనిషి, మోకాళ్ల నొప్పులతో ఆ మెట్లన్నీ ఎక్కి దిగారు.

ఇక చెత్తకుప్ప సంగతి. మొదటిసారి జూన్‌లో శ్రమదానం పెట్టి ఎత్తించాం. ట్రాక్టర్ నిండా పోయింది. ఫొటోలు దిగాం, గ్రూపులో పెట్టాం, అందరూ చప్పట్లు కొట్టారు. పది రోజుల్లో కుప్ప మళ్లీ అక్కడే. వానాకాలం కదా, నాలా నిండి ఆ కుప్పలోని కవర్లన్నీ మెట్ల మీదకు తేలి వచ్చాయి. కార్యవర్గంలో ఇద్దరు ఇక మన వల్ల కాదన్నారు. నాకూ ఆ రోజు అలాగే అనిపించింది.

దారి చూపింది మన వీధులు ఊడ్చే పారిశుధ్య కార్మికురాలు. ఆమె ఒక్క మాట అన్నారు: "సార్, ఎత్తేసి పోతే వేస్తరు. ముగ్గు పెడితే ఎయ్యరు." సెప్టెంబర్‌లో రెండోసారి కుప్ప ఎత్తించిన మర్నాడు తెల్లవారుజామున ఐదున్నరకు ఆమే అక్కడ నీళ్లు చల్లి, సున్నంతో పెద్ద చుక్కల ముగ్గు వేశారు. మధ్యలో పసుపు, నాలుగు మూలలా కుంకుమ. ఆ రోజు కవరు పట్టుకుని వచ్చిన ఒకాయన ముగ్గు దగ్గర ఆగి, అటూ ఇటూ చూసి, కవరుతో సహా వెనక్కి తిరిగి వెళ్లడం నా కళ్లతో చూశాను. అప్పటి నుంచి మహిళా విభాగం వాళ్లు వారం వంతులు వేసుకుని రోజూ ముగ్గు పెట్టారు. తొంభై రోజులు ఒక్క రోజు తప్పలేదు. ధనుర్మాసం వచ్చేసరికి పక్క కాలనీ పిల్లలు కూడా రంగులు తెచ్చుకుని పోటీ పడ్డారు. ఇప్పుడక్కడ ఒక సిమెంటు బల్ల, రెండు కానుగ మొక్కలు, ఒక వేప మొక్క ఉన్నాయి. బల్ల ఇచ్చిన దాత తన పేరు వేయవద్దన్నారు కాబట్టి ఇక్కడా రాయడం లేదు.

చెత్త పోయాక చీకటి మిగిలింది. దీపాల కోసం తిరుగుతుండగానే ఇంకో ఆలోచన వచ్చింది. మెయిన్ రోడ్డు మీద ట్రాఫిక్ వాళ్లు లేపేస్తుంటే బండ్లు అటూ ఇటూ తోసుకునే మొక్కజొన్న పొత్తుల అక్కను, కూరగాయల ఇద్దరిని, మిర్చీ బజ్జీల అన్నను ఈ దారిలోకి రమ్మని అడిగాం. వాళ్లకు గిరాకీ కావాలి, మనకు దారిలో మనుషులు కావాలి. 2014 వీధి వ్యాపారుల చట్టం కింద గుర్తింపు కార్డులు ఉన్నవాళ్లనే పిలిచాం, నడిచే దారి వదిలి ఒక వైపే నిలబడాలని మాట తీసుకున్నాం. దీనికి సభ్యుల్లో కొందరు గట్టిగా అభ్యంతరం చెప్పారు, కాలనీ అందం పోతుందని. వాళ్లతో నేను ఏకీభవించను. సాయంత్రం ఆరున్నర రైలు దిగిన ఆడవాళ్లు కూరగాయలు బేరం చేసుకుంటూ నవ్వుతూ నడిచి వెళ్తుంటే అంతకన్నా అందం ఏముంటుంది? పొత్తుల అక్క బొగ్గుల కుంపటి వెలుగే ఆ దారికి మొదటి దీపం. స్తంభాల మీద దీపాలు ఆ తర్వాత నెలన్నరకు వెలిగాయి. మూడు స్తంభాల్లో రెండే వెలుగుతున్నాయి, మూడోదాని ఫిర్యాదు ఇప్పటికీ నడుస్తోంది.

ఈ ఏడాది మనం గర్వంగా చెప్పుకోవాల్సింది 2024 అక్టోబర్ 10, సద్దుల బతుకమ్మ. ఏటా కమ్యూనిటీ హాలు ముందు ఆడేవాళ్లం. ఈసారి స్టేషన్ దారి మొదట్లో, కంచె బయట ఆడదామని మహిళా విభాగం పట్టుబట్టింది. ముందు నేను భయపడ్డాను. రైళ్లు, జనం, పిల్లలు, ఏదైనా జరిగితే? టెన్షన్‌తో ముందు రోజు నిద్ర పట్టలేదు. రైల్వే స్థలంలోకి ఎవరూ అడుగు పెట్టకుండా మన యువకులు తాడు కట్టి, సాయంత్రం నాలుగు నుంచే అక్కడ నిలబడ్డారు. స్టేషన్ సిబ్బంది కూడా ఎంతో సహకరించారు, వాళ్లకు ధన్యవాదాలు.

తంగేడు, గునుగు, బంతి, కట్లపూలు. గునుగుకు రంగులద్దిన వేళ్లు ఎర్రగా, నీలంగా. ఇరవైకి పైగా బతుకమ్మలు వరుసగా పెట్టారు, అన్నిటికన్నా పెద్దది ఆరేళ్ల పాప నడుము దాకా ఉంది. ఆట జోరు మీదుండగా సికింద్రాబాద్ నుంచి రైలొచ్చింది. దిగినవాళ్లు బ్రిడ్జి మెట్ల మీద బారులు తీరి నిలబడిపోయారు. ఆఫీసు బ్యాగు, ఐడీ కార్డు మెడలో అలాగే ఉన్న ఒకమ్మాయి మెట్లు దిగి, చెప్పులు పక్కన విడిచి, వలయంలో కలిసి చప్పట్లు కొడుతూ ఆడింది. ఆమె వెనకే ఇంకో ఇద్దరు. ఎవరో మనకు తెలియదు, ఏ కాలనీయో కూడా అడగలేదు. ఆట అయ్యాక బతుకమ్మలను నెత్తిన పెట్టుకుని ఆ రెండు వందల గజాలూ నడిచి చెరువుకు వెళ్లాం. సత్తుపిండి, మలీద ముద్దలు దారి పొడవునా పంచారు. కోచింగ్‌కు వెళ్లే అమ్మాయి గురించి పైన రాశాను కదా, వాళ్ల నాన్న ఆ రోజు నా పక్కనే నడిచారు. ఇప్పుడు ఆయన సికింద్రాబాద్ వెళ్లడం లేదు. సాయంత్రం మెట్ల దగ్గరి సిమెంటు బల్ల మీద కూర్చుని బిడ్డ కోసం చూస్తారు.

రైళ్ల సంగతి. 2024 మార్చిలో సనత్‌నగర్ – మౌలాలి లైను మీద ప్రయాణికుల రైళ్లు మొదలయ్యాయి, 2025 జనవరి 6న చర్లపల్లి టెర్మినల్ ప్రారంభమైంది. మన లైనుకు మాత్రం పొద్దున ఆఫీసు వేళల్లో ఉన్నవి చాలవు. ఒక రైలు తప్పితే తర్వాతి దాని కోసం కూర్చునే ఓపిక ఎవరికుంటుంది? 2023 డిసెంబర్ 9 నుంచి ఆడవాళ్లకు బస్సు ఉచితమైంది. మంచి పథకం, మన ఇళ్లలో ఎందరికో మేలు జరిగింది. కానీ రైలు వేళలు బాగా లేకపోతే ఇప్పుడు రైలెక్కుతున్నవాళ్లు కూడా బస్సుకే వెళ్తారు, జనం లేరని రైళ్లు పెంచరు. అందుకే నెలవారీ పాసులు తీసుకోండని ఇంటింటికీ తిరిగి చెప్పాం. కాగితం మీద లెక్క కనపడితేనే అడిగే హక్కు ఉంటుంది. వేళలు మార్చాలని సంతకాలతో మూడు విజ్ఞాపనలు పంపాం. ఒక్కదానికీ జవాబు రాలేదు. అందినట్టు ఒక్క వాక్యం రాయడానికి ఏం పోయిందో నాకు అర్థం కాదు.

2025 మే 22న అమృత్ భారత్ పథకం కింద బాగుచేసిన 103 స్టేషన్లు దేశవ్యాప్తంగా ప్రారంభమయ్యాయి. మన రాష్ట్రంలో వరంగల్, కరీంనగర్‌లతో పాటు బేగంపేట కూడా అందులో ఉంది. ఆడవాళ్లే సిబ్బందిగా నడిపే బేగంపేట స్టేషన్‌ను చూడటానికి కార్యవర్గం నుంచి ఐదుగురం వెళ్లాం. మన స్టేషన్‌కు కూడా అలాంటి రోజు రావాలని కోరుకుంటూనే, అప్పటి దాకా చేతులు కట్టుకుని కూర్చోలేమని తిరుగు రైల్లో మాట్లాడుకున్నాం.

పట్టాలు దాటడం గురించి ఒక మాట. బ్రిడ్జి ఉన్నా కొందరు ఇంకా పట్టాల మీదుగానే దాటుతున్నారు, అందులో మన సభ్యులూ ఉన్నారు. రైల్వే చట్టం 147వ సెక్షన్ కింద ఆరు నెలల దాకా జైలు, వెయ్యి రూపాయల దాకా జరిమానా ఉంది. జరిమానా సంగతి తర్వాత, ఎలక్ట్రిక్ రైలు దగ్గరికొచ్చే దాకా చప్పుడే వినపడదు. దయచేసి మానండి.

ఇంకో విషయం బాధతోనే రాస్తున్నాను. శ్రమదానానికి గ్రూపులో బొటనవేళ్లు చూపించినవాళ్లు అరవై మందికి పైగా. పార పట్టుకుని వచ్చింది పదకొండు మంది. రెండోసారి తొమ్మిది. అందులో నలుగురు డెబ్బై దాటినవాళ్లు. రాలేకపోతే రాలేమని చెప్పండి, మేము కూలీలను మాట్లాడుకుంటాం. వస్తామని చెప్పి రాకపోతే ట్రాక్టర్ వాడి ముందు తలదించుకోవాల్సి వస్తోంది. ఉపసంఘాల్లో పేర్లు ఇచ్చి ఒక్క సమావేశానికీ రాని మిత్రులు ఈసారి ఆ స్థానాలు వేరేవాళ్లకు వదలాలని సవినయంగా కోరుతున్నాను.

జమాఖర్చుల పట్టిక కోశాధికారి విడిగా పంచుతున్నారు. ఆడిట్ పూర్తయింది, అప్పు లేదు, కొద్దిగా మిగులు ఉంది. చందా బాకీలున్నవారు ఈ రోజే కడితే సంతోషం.

ధన్యవాదాలు చెప్పాల్సినవాళ్లు చాలామంది. ముగ్గు దారి చూపిన పారిశుధ్య కార్మికురాలికి, తొంభై రోజుల వంతులు మోసిన మహిళా విభాగానికి, తాడు పట్టుకుని నిలబడ్డ యువకులకు, బతుకమ్మ రోజు మైకు, కరెంటు ఉచితంగా ఇచ్చిన టెంట్‌హౌస్ వారికి, మొక్కలకు ఎండాకాలమంతా బిందెలతో నీళ్లు పోసిన బజ్జీల అన్నకు, విజ్ఞాపనలు టైపు చేసి ఇచ్చిన ఇంటర్నెట్ సెంటర్ తమ్ముడికి, పాత ఫైళ్లన్నీ భద్రంగా అందించిన మాజీ కార్యదర్శి గారికి, పొద్దున్నే టీ ఫ్లాస్కులు పంపిన ఇళ్లన్నిటికీ సంఘం తరఫున కృతజ్ఞతలు. ఎవరి పేరైనా మరిచిపోతే అది నా తప్పే.

వచ్చే ఏడాదికి మూడో స్తంభం దీపం, నాలా పలకలు, మెట్ల పక్కన చక్రాల కుర్చీ దిగే వాలు దారి, పొద్దున ఎనిమిది, తొమ్మిది మధ్య ఇంకో రైలు కోసం ప్రయత్నం పెట్టుకున్నాం. నాలా పూడిక తీసే పని వానలు ముదరకముందే కావాలి. వచ్చే ఆదివారం ఉదయం ఆరింటికి స్టేషన్ మెట్ల దగ్గర కలుద్దాం. పారలు, గంపలు కమ్యూనిటీ హాలు స్టోర్‌లో ఉన్నాయి, చేతి తొడుగులు మాత్రం ఎవరివి వాళ్లు తెచ్చుకోండి.

ఇట్లు,
కార్యదర్శి