ఈ వేసవి క్యాంపు మిక్స్ ఎందుకు ఆలస్యమైందంటే

మే మొదటి వారానికల్లా పిల్లల క్యాంపు మిక్స్ ఇస్తానని మీలో చాలామంది దగ్గర అడ్వాన్సు తీసుకున్నాను. ఇవ్వలేకపోయాను. కొందరికి ఫోన్ చేసి చెప్పాను, కొందరికి ‘కొంచెం లేటవుతుంది’ అని మెసేజ్ పెట్టి ఊరుకున్నాను. అట్లా పెట్టడం తప్పే. పాతూరు నుంచి ఆటోలో వచ్చి మరీ తీసుకుపోయేవాళ్లు ఐదేళ్లుగా ఉన్నారు. వాళ్లకు జరిగింది జరిగినట్టు చెప్పాలి.

కొత్తవాళ్ల కోసం ఒక్క మాట. కొండలెక్కేవాళ్లు సంచిలో వేసుకుని దారి పొడవునా నములుతూ పోయే గింజలు, ఎండుపళ్ల కలగలుపును ట్రైల్ మిక్స్ అంటారు. మా క్యాంపు మిక్స్ అదే, మన సరుకుతో చేసింది. మా పాప పరుగుల క్యాంపుకు పోయినప్పుడు మొదలుపెట్టాను. ఐదున్నరకు గ్రౌండులో ఉండాలి, టిఫిన్ ఎనిమిదిన్నరకు. మధ్యలో కళ్లు తిరుగుతున్నాయనేది. బిస్కెట్లు పెట్టి పంపితే అరగంటకే మళ్లీ ఆకలి. వేయించిన శెనక్కాయ విత్తనాలు, పుట్నాల పప్పులు, గుమ్మడి గింజలు, నల్ల కిస్‌మిస్, ఎండుఖర్జూరం ముక్కలు, జొన్న పేలాలు, కాస్త ఉప్పు కలిపి పంపడం మొదలుపెట్టాక ఆ మాట వినలేదు. చాక్లెట్ వేయమని పిల్లలు ఇప్పటికీ అడుగుతారు. నలభై డిగ్రీలు దాటే అనంతపురం ఎండలో అది కరిగి అన్నింటికీ అంటుకుంటుంది. వేయను.

ఇందులో దాదాపు సగం శెనక్కాయే. తక్కినవన్నీ దాని చుట్టూ చేరినవి. నూరు గ్రాముల విత్తనాల్లో 25 గ్రాముల దాకా ప్రొటీన్ ఉంటుంది, 560 కేలరీల పైమాటే. పిల్లల పిడికిలితో ఒక పిడికెడు తిని నీళ్లు తాగితే రెండు గంటలు నిలబడతారు. అదే శెనక్కాయ దగ్గర ఈసారి దెబ్బ తిన్నాను.

ఏప్రిల్ మూడో వారంలో ఎప్పుడూ ఇచ్చే వ్యాపారి దగ్గరే 50 కిలోల బస్తాలు రెండు తీసుకున్నాను. ఐదేళ్లుగా ఆయన్ను అన్నా అనే పిలుస్తున్నాను. ధర గురించి ఒక్కసారి కూడా గీచి గీచి బేరమాడలేదు. ‘అన్నా, పిల్లలు తినేది’ అని ప్రతిసారీ చెప్పేదాన్ని, ‘నాకు తెలీదామ్మా’ అనేవాడు. పైన గింజలు చూశాను, ఎర్రగా, బాగున్నాయి. అడుగు దాకా చెయ్యి పెట్టి చూడలేదు. ఆ తప్పు నాదే. వేయించేటప్పుడు ఎప్పటికంటే ఎక్కువసేపు పట్టింది. చెమ్మ ఉందని అప్పుడే అనుమానం రావాలి. మంట తక్కువైందనుకున్నాను.

మొదటి విడత 22 పాకెట్లు క్రికెట్ క్యాంపు పిల్లలకు పోయాయి. రెండో రోజు ఒక బాబు వాళ్ల అవ్వ ఫోన్ చేసింది. కోపంగా కూడా చేయలేదు. ‘పాపా, శెనక్కాయ ముక్కింది, పిల్లోడు ఉమ్మేస్తున్నాడు, చూసుకో’ అంది. డబ్బాలో ఉన్నవి నోట్లో వేసుకున్నాను. నాలుగు బాగున్నాయి, ఐదోది చేదు. మంచి మిక్స్‌లో ఆ ఒక్క చేదు గింజ ఎట్లా ఉంటుందో మీకు చెప్పనక్కర్లేదు. ఆ సాయంత్రమే 22 ఇళ్లకూ ఫోన్ చేసి పాకెట్లు వెనక్కి తెప్పించుకున్నాను. మూడు మాత్రం అప్పటికే పిల్లలు సగం తినేశారు. ఆ మూడిళ్లకు నేనే పోయి చెప్పి వచ్చాను.

రెండో బస్తా కింద పరిచి చూస్తే అడుగున విత్తనాలు చల్లగా, మెత్తగా ఉన్నాయి. కొన్నింటి మొన దగ్గర పసుపుపచ్చ బూజు. కాయ వలిచే మిషనులో విత్తనం పగలకుండా ఉండాలని ముందుగా నీళ్లు చల్లుతారు. అట్లా చల్లితే వలిచాక మళ్లీ ఎండబెట్టాలి. వీళ్లు ఎండబెట్టకుండా బస్తాకెత్తి, కుట్టేసి, గోడౌన్‌లో పెట్టారు. తూకం కూడా పెరుగుతుంది కదా. పోయి అడిగితే ఆయన కాదనలేదు. ‘అందరూ ఇట్లే చేస్తారు కదమ్మా, వేయిస్తే పోతుంది, పైన మసాలా వేసెయ్’ అన్నాడు. బస్తా పాడవడం కంటే ఆ మాటే నాకు ఎక్కువ నొప్పి పెట్టింది. పిల్లలు తినేదని ఐదేళ్లుగా నేను చెప్పింది ఆయన చెవికి ఎక్కనే లేదని అప్పుడు తెలిసింది. బస్తాలు మార్చి ఇస్తానన్నాడు. వద్దన్నాను. ఇక ఆ గడప తొక్కను. డబ్బు కోసం మళ్లీ పోతానేమోనని మా ఆయన అనుకుంటున్నాడు, పోను.

వేయిస్తే పోతుందన్న మాట నిజం కాదు. ఆ బూజు వల్ల పుట్టే విషాన్ని ఆఫ్లాటాక్సిన్ అంటారు. కాలేయాన్ని దెబ్బ తీస్తుంది. వేయిస్తే కొంత తగ్గవచ్చేమో గానీ పూర్తిగా పోదు.

అసలు కష్టం తర్వాత వచ్చింది. విత్తనాలను హైదరాబాదులో ఒక ల్యాబుకు పంపాను. నేరుగా తినే గింజల్లో ఆఫ్లాటాక్సిన్ కిలోకు 10 మైక్రోగ్రాములు దాటకూడదని రూలు. నా శాంపిల్‌లో 6 వచ్చింది. అంటే కాగితం ప్రకారం అమ్ముకోవచ్చు. అప్పటికి 31 కిలోల మిక్స్ కలిపి ఉంది, మరో 70 కిలోలకు పైగా విత్తనాలు మిగిలి ఉన్నాయి. రెండు రాత్రులు నిద్ర పట్టలేదు. చెడ్డవి ఏరేసి అమ్మేద్దామా? రిపోర్టు చేతిలో ఉంది, ఎవరూ తప్పు పట్టరు. క్యాంపులు మొదలవుతున్నాయి, అడ్వాన్సులు ఖర్చయిపోయాయి, ఖర్జూరం వాళ్లకు కట్టాలి. మా చిన్నాన్న గానుగకు వేసెయ్యమన్నాడు. పక్కింటి వాళ్లు గేదెకు అడిగారు.

నాకు తెలిసిన సంగతి ఒకటి అడ్డుపడుతూనే వచ్చింది. బూజు బస్తా అంతా సమంగా పట్టదు. ఒక మూలన గుప్పెడు గింజల్లో విపరీతంగా ఉండి, పక్క గింజలో బొత్తిగా లేకపోవచ్చు. నేను పంపిన శాంపిల్ గుప్పెళ్లలో మంచివే ఎక్కువ పడి ఉండవచ్చు. ఆ చెడ్డ గుప్పెడు ఏ పిల్లవాడి పాకెట్‌లో పడుతుందో రిపోర్టు చెప్పదు. గానుగకు వేస్తే చాలావరకు చెక్కలోకి పోయినా కొంత నూనెలోకి దిగుతుంది. గేదెకు పెడితే పాలలోకి వస్తుంది, ఆ పాలు తాగేదీ పిల్లలే. మూడో రోజు పొద్దున ఊరి బయట మా తమ్ముడి స్థలంలో గుంత తీయించి మొత్తం పూడ్చిపెట్టించాను. పాకెట్లు వాపసు ఇచ్చినవాళ్లలో ఇద్దరు వచ్చి చూశారు కూడా. శెనక్కాయ పండించే ఇంట్లో పుట్టినదాన్ని. గింజ కింద పడితే కళ్లకద్దుకుని తీసే మా అమ్మ ముందు ఆ పని చేయడం మాటల్లో చెప్పలేను.

శెనక్కాయ తీసేసి బాదం, జీడిపప్పుతో చేయమని కొందరు సలహా ఇచ్చారు. ఒకసారి చేసి చూశాను కూడా. రుచి బాగుంది, ధర దాదాపు రెట్టింపు. పైగా కరువు సీమలో మన తిండి నిలబెట్టిన పంటను ఒక వ్యాపారి నిర్లక్ష్యానికి పక్కన పెట్టడం నాకు ఇష్టం లేదు. శెనక్కాయ తప్పేమీ లేదు. అది ఉంటుంది.

ఇప్పుడు కూడేరు వైపు బోరు కింద రబీ పంట తీసిన రైతు దగ్గర కాయలే కొన్నాను, కదిరి-6 రకం. కాయ పట్టుకుని ఆడిస్తే గలగలమనాలి, అట్లా ఉన్నవే తెచ్చాను. నీళ్లు తగలకుండా ఇంట్లో నలుగురం చేత్తో వలుస్తున్నాం. ముడుచుకున్నవి, రంగు మారినవి, పుచ్చినవి పళ్లెంలో పోసి ఏరేస్తున్నాం. పది కిలోల కాయలకు ఏడు కిలోల విత్తనాలు కూడా రావు, ఏరాక ఇంకా తగ్గుతాయి. అందుకే వారానికి 40 పాకెట్లకు మించి చేయలేను. 250 గ్రాముల పాకెట్ 140 నుంచి 165 రూపాయలు చేయక తప్పలేదు. ఇంతకుముందు అడ్వాన్సు ఇచ్చినవాళ్లకు పాత ధరే. ఆగలేనివాళ్లు చెప్పండి, డబ్బు అదే రోజు వాపసు ఇస్తాను, మొహమాటం వద్దు.

ఈలోపు ఇంట్లో చేసుకోవచ్చు. విత్తనాలు ముందు ఏరి, సన్నని సెగ మీద వేయించి, పూర్తిగా చల్లారాక పుట్నాలు, గుమ్మడి గింజలు కలపండి. పేలాలు, కిస్‌మిస్ మాత్రం విడి డబ్బాల్లో ఉంచి, పొద్దున పంపేటప్పుడే కలపండి. కిస్‌మిస్‌లోని చెమ్మకు పేలాలు ఒక్క రాత్రిలో మెత్తబడతాయి. పరుగెత్తుతూ తినవద్దని పిల్లలకు చెప్పండి. ఐదేళ్ల లోపు వాళ్లకు గింజలు అట్లాగే ఇవ్వకండి, గొంతులో అడ్డం పడతాయి. శెనక్కాయ పడని పిల్లలుంటే నా దగ్గర చేసేవి ఏవీ తీసుకోకండి, అన్నీ ఒకే బాండలిలో వేయిస్తాను.

కొత్త మిక్స్‌లో మొదటి పాకెట్ ఆ అవ్వ ఇంటికి పంపాను. ఆమె తిని సరేనన్న తర్వాతే మిగతావి కట్టడం మొదలుపెట్టాం. తీసుకోవడానికి వచ్చేవాళ్లు సాయంత్రం ఐదు తర్వాత రండి. పగలంతా వలుస్తూ ఉంటాం, కూర్చోవడానికి కూడా చోటుండదు.