చపాటా పేరు చపాటాకే ఉండాలి

సంపాదకులకు నమస్కారం.

ఈ ఎండాకాలం ఆవకాయ పెడదామని హనుమకొండలో ఓ దుకాణంలో 'వరంగల్ చపాటా' అని రాసున్న కారం రెండు కిలోలు తెచ్చాను. చపాటా అంటే మన వరంగల్ వైపు మిరప రకం. ఆ కారమైతే మూడోనాటికే జాడీలో నూనె ఎర్రగా తేలాలి, ఘాటు తక్కువుండాలి. ఈసారి నూనె రంగు ఎక్కనేలేదు. ముక్క నోట్లో పెట్టగానే పిల్లలు నీళ్లకోసం పరుగెత్తారు. మా పుట్టిల్లు దుగ్గొండి దిక్కు. కల్లంలో కూర్చుని తాలు ఏరి, చపాటాకు తొడిమలు తీసిన చేతులివి. ఆ ప్యాకెట్టులో ఉన్నది చపాటా కాదని వేళ్లకు అంటిన రంగు చూస్తేనే తెలిసింది.

2025లో మన చపాటాకు జీఐ గుర్తింపు, అంటే ఫలానా ప్రాంతపు సరుకని చట్టం ఇచ్చే గుర్తింపు, వచ్చింది. ఎంతో సంతోషించాం. కానీ పేరు వచ్చాక దాన్ని కాపాడుకోవడమే అసలు పని. అమెరికాలోని ఒరెగాన్ ద్రాక్ష రైతులు ఆ పని పేరు రాకముందే చేశారు.

ఒరెగాన్‌లోని విల్లమెట్ లోయలో చలి, వాన ఎక్కువ. 1965లో డేవిడ్ లెట్ అనే పాతికేళ్ల యువకుడు కాలిఫోర్నియా నుంచి ద్రాక్ష కొమ్మలు పట్టుకుని అక్కడికి వెళ్లాడు. ఆ చలిలో కాయ పండదని చదువుకున్న చోట ప్రొఫెసర్లే చెప్పారు. వైన్ చేసే పీనో నోయర్ ద్రాక్ష రకానికి చల్లటి నేలే కావాలని, నిదానంగా పండితేనే రుచి వస్తుందని అతని నమ్మకం. ఆ లోయలోని డండీ కొండల్లో నాటాడు. 1979లో పారిస్‌లో జరిగిన పోటీలో అతని 1975 నాటి వైన్ పేరున్న ఫ్రెంచి వైన్ల సరసన మొదటి పదింటిలో నిలిచింది. 1987లో ఫ్రాన్సు వైన్ వ్యాపార కుటుంబమైన ద్రూఆన్‌లు వచ్చి ఆ కొండల్లోనే భూమి కొన్నారు.

నన్ను ఆలోచనలో పడేసింది మాత్రం 1977లో జరిగిన పని. పారిస్ పోటీకి రెండేళ్ల ముందే, తోటలు ఇంకా లేతగా ఉండగానే, అక్కడివాళ్లు పట్టుబట్టి లేబుల్ నిబంధనలు తెచ్చుకున్నారు. సీసా మీద ద్రాక్ష రకం పేరు వేస్తే 90 శాతం ఆ రకమే ఉండాలి. అప్పుడు దేశ చట్టానికి 51 శాతం చాలు.

మనకూ అలాంటి గీత ఒకటి కావాలి. ప్యాకెట్టు మీద 'చపాటా' అని ఉంటే అందులో ఎన్ని పాళ్లు చపాటానో అంకెల్లో అచ్చు వేయాలి. ఆ అంకె ఎంతుండాలో రైతు సంఘాలు, ఉద్యానశాఖ కూర్చుని తేల్చాలి. వచ్చే మిర్చి సీజన్‌కు వరంగల్ ఎనుమాముల మార్కెట్‌కు బస్తాలు రాకముందే ఇది కావాలి. ఆహార భద్రత అధికారులు దుకాణాల్లో నమూనాలు తీసి, ఫలితాలు మీలాంటి పత్రికల్లో వేయించాలి.

— ఒక పాఠకురాలు, హనుమకొండ