సైటు అమ్మమని అడుగుతున్నవాళ్ళ గురించి, ఒలేనా ప్రితులా గురించి, వచ్చే నెల నుంచి మారే రేట్ల గురించి

మా సర్వర్లలో సైట్లు నడుపుకుంటున్న జిల్లా వార్తా సంస్థలకీ, అమెరికా, గల్ఫ్ నుంచి నడిచే తెలుగు పత్రికలకీ నమస్కారం. రేట్లు పెరుగుతున్నాయి, ఒక సదుపాయం ఆపేస్తున్నాం. ఆ వివరాలు కింద ఉన్నాయి. దానికి ముందు, ఈమధ్య మీలో చాలామంది అడుగుతున్న ప్రశ్న ఒకటుంది: "సైటు కొంటామని ఒకాయన వచ్చాడు, ఇచ్చేయమంటారా?"

ఇచ్చేయమనీ వద్దనీ చెప్పడానికి మేమెవరం? మేం అమ్మేది హోస్టింగు. కాకపోతే ఈ దారిలో మొదటి నుంచి అమ్మకం దాకా నడిచిన ఒకావిడ వృత్తి జీవితం అందరికీ తెలిసేలా నమోదై ఉంది. ఆవిడ ఎప్పుడు ఏం వదులుకున్నారో వరసగా చూస్తే మీ లెక్క మీరు వేసుకోవచ్చు.

ఆవిడ ఉక్రెయిన్ జర్నలిస్టు ఒలేనా ప్రితులా. 1967లో పుట్టారు. ఒడెసా పాలిటెక్నిక్‌లో ఇంజనీరింగ్ చదివి, ఆ పని వదిలేసి వార్తా ఏజెన్సీల్లో చేరారు. ఇంటర్‌ఫాక్స్-ఉక్రెయిన్ తరఫున అధ్యక్షుడి వార్తలు రాసేవారు. 2000 ఏప్రిల్ 16న తోటి జర్నలిస్టు గియోర్గీ గొంగాడ్జేతో కలిసి 'ఉక్రయిన్‌స్కా ప్రావ్దా' అనే వార్తల సైటు మొదలుపెట్టారు. అప్పటి అధ్యక్షుడు లియొనిద్ కుచ్మా తన అధికారాలు పెంచుకోవడానికి పెట్టిన రెఫరెండానికి పోలింగ్ జరిగింది ఆ రోజే.

పేపరు పెట్టాలంటే ప్రెస్సు, న్యూస్‌ప్రింటు, పంపిణీ కావాలి. ఈ మూడింటిలో ఎక్కడ పట్టుకున్నా గొంతు నొక్కొచ్చు. సైటుకి ఆ బెడద లేదు. అయితే చదివేవాళ్ళూ లేరు. ఆ ఏడాది ఉక్రెయిన్‌లో ఇంటర్నెట్ వాడేవాళ్ళు నూటికి ఒక్కరు కూడా లేరు. ఉన్న కొద్దిమందిలో విలేఖరులు, రాజకీయ నాయకులు, రాయబార కార్యాలయాలవాళ్ళు ఉండటంతో సైటుకి పలుకుబడి వచ్చింది, డబ్బు రాలేదు. ఇంత చిన్న లెక్కకి ప్రకటన ఎవరిస్తారు? అందుకే తొలి ఏళ్ళలో బండి నడిచింది గ్రాంట్ల మీద. అమెరికాకి చెందిన నేషనల్ ఎండోమెంట్ ఫర్ డెమోక్రసీ ఇచ్చినవాళ్ళలో ఒకటి.

ఇక్కడ మనవాళ్ళకి ఒక హెచ్చరిక. "మేమూ గ్రాంటు తెచ్చుకుంటాం" అనేవాళ్ళు విదేశీ విరాళాల నియంత్రణ చట్టం, 2010లోని 3వ సెక్షన్ చదవండి. రిజిస్టరైన పత్రికల యజమానులు, సంపాదకులు, విలేఖరులు విదేశీ విరాళం తీసుకోకూడదు. ఎలక్ట్రానిక్ పద్ధతిలో ఆడియో, వీడియో వార్తలు తయారుచేసే సంస్థలూ తీసుకోకూడదు. వీడియో బులెటిన్ లేని సైటు మన దగ్గర ఎక్కడుంది? డాలస్‌లో ఉన్న మీ అభిమాని భారత పాస్‌పోర్టుతోనే ఉండి, తన సంపాదనలోంచి బ్యాంకు ద్వారా పంపితే అది విదేశీ విరాళం కిందికి రాదు. అదే మనిషి అమెరికా పౌరసత్వం తీసుకుని ఉంటే, విదేశీ పౌరులైన భారతీయులకిచ్చే ఓసీఐ కార్డున్నా సరే, వస్తుంది. చదివినందుకు కట్టే చందా వేరే సంగతి. మామూలు వ్యాపారంలో ఇచ్చిన సేవకి తీసుకున్న రుసుము విరాళం కాదు. కాబట్టి సైటు మీద 'డొనేట్' అన్న బటన్ ఉంటే తీసేయించి 'చందా' అని పెట్టించండి. చందాకి బదులుగా ఏమిస్తున్నారో ఆ పేజీలోనే రాయండి, రశీదు ఇవ్వండి. మీ ఆడిటర్‌ని ఒకసారి అడిగాకే.

మళ్ళీ ఉక్రెయిన్ రాజధాని కీవ్‌కి. సైటు పెట్టిన అయిదు నెలలకే, 2000 సెప్టెంబర్ 16 రాత్రి, గొంగాడ్జే ప్రితులా ఇంటి నుంచి బయల్దేరి తన ఇంటికి చేరలేదు. నవంబరులో తరాష్చా దగ్గర అడవిలో తల లేని శవం దొరికింది. అదే నెల 28న ప్రతిపక్ష నాయకుడు ఒలెక్సాండర్ మొరోజ్ పార్లమెంటులో టేపులు బయటపెట్టారు. అవి కుచ్మా గదిలో రికార్డు చేసినవనీ, గొంగాడ్జేని వదిలించుకునే మాటలు వాటిలో ఉన్నాయనీ ఆరోపణ. ముగ్గురు పోలీసు అధికారులకి 2008లో శిక్ష పడింది. వాళ్ళ పైఅధికారి ఒలెక్సీ పుకాచ్‌కి 2013లో యావజ్జీవం పడింది. చేయించినవాళ్ళ సంగతి ఇంతవరకూ కోర్టులో తేలలేదు.

ఆ పరిస్థితిలో సైటు మూసేసినా ఎవరూ తప్పుపట్టేవాళ్ళు కాదు. ప్రితులా ఎడిటర్ కుర్చీలో కూర్చున్నారు, యజమానిగానూ ఉన్నారు. ఆ రెండు టోపీలూ 14 ఏళ్ళు ఒకే నెత్తిన మోశారు. ఎన్నికల్లో మోసం జరిగిందని జనం వీధుల్లోకి వచ్చిన 2004 ఆరెంజ్ విప్లవం రోజుల్లో పాఠకులు ఎన్నో రెట్లు పెరిగారు. అధ్యక్షుడి కార్యాలయం ఏ వార్త ఎలా ఇవ్వాలో టీవీ చానళ్ళకి రహస్యంగా చీటీలు పంపే కాలమది. చానళ్ళు చెప్పనిది జనం సైటులో వెతుక్కున్నారు. చదివేవాళ్ళొస్తే ప్రకటనలొస్తాయి. గ్రాంట్ల నుంచి ప్రకటనలకి మారే వీలు చిక్కింది అలాగే.

తర్వాత ఆవిడ చేసిన పని మన జిల్లా సైట్లకి బాగా పనికొస్తుంది. రాజకీయం చదివేవాడికే అన్నీ అమ్మాలని చూడకుండా, ఒక్కో విషయానికి ఒక్కో సైటు తెరిచారు. వ్యాపారానికి 'ఎకనమిచ్నా ప్రావ్దా' 2005లో, చరిత్రకి 'ఇస్తొరిచ్నా ప్రావ్దా' 2010లో, యూరప్ సంబంధాలకి 'యెవ్రొపెయ్‌స్కా ప్రావ్దా' 2014లో వచ్చాయి. ఈ మూడింటికీ సొంత డొమైన్లు (సైటు చిరునామాలు), సొంత సంపాదకులు ఉన్నారు. సినిమా కబుర్లకీ, జీవనశైలికీ మాత్రం అసలు డొమైన్ కిందే సబ్‌డొమైన్లు ఇచ్చారు. మేం చెప్పేదీ ఇదే: వేరే ఎడిటర్, వేరే ప్రకటనదారు ఉంటేనే వేరే డొమైన్ కొనండి. లేకపోతే సబ్‌డొమైన్ చాలు. ప్రతి కొత్త డొమైన్‌కీ సెర్చ్ కన్సోల్ (గూగుల్ వెతుకులాటలో సైటు ఎలా కనబడుతోందో చూపేది), ఎస్ఎస్ఎల్ (భద్రతా సర్టిఫికెట్), యాడ్స్ టెక్స్ట్ ఫైలు (సైటులో ప్రకటనలు ఎవరు అమ్మొచ్చో చెప్పేది), రెన్యువల్ తేదీ మళ్ళీ మొదటి నుంచి చూసుకోవాలి. ఒక్క మనిషి నాలుగు డొమైన్లు నడిపితే మూడింటి మీద దుమ్మే పేరుకుంటుంది.

2014 అక్టోబరులో ఎడిటర్ పదవిని సెవ్‌గిల్ ముసాయెవాకి అప్పజెప్పారు. ఆమె క్రిమియా తాతార్ జాతి మనిషి, అప్పటికి వయసు 27, ఫోర్బ్స్ ఉక్రెయిన్‌లో వ్యాపార వార్తలు రాసి వచ్చారు. ప్రితులా యజమానిగా మిగిలారు. అమ్మకం జరిగింది ఆ తర్వాత ఆరున్నరేళ్ళకి. 2021 మే నెలలో డ్రాగన్ క్యాపిటల్ అనే పెట్టుబడుల సంస్థ అధిపతి, చెక్ దేశస్థుడు తోమాష్ ఫియాలా 100 శాతం వాటా కొన్నారు. ధర బయటపెట్టలేదు. ముసాయెవా ఎడిటర్‌గా ఉంటారనీ, సంపాదకీయ విధానం మారదనీ అప్పుడే ప్రకటించారు.

ఈ మధ్యలో ఇంకో ఘోరం. 2016 జులై 20 ఉదయం, కీవ్ నడిబొడ్డున, ప్రితులా జీవిత సహచరుడూ సైటులో జర్నలిస్టూ అయిన పావెల్ షెరెమెత్ కారు బాంబుకి బలయ్యారు. ఆయన నడుపుతున్నది ప్రితులా కారే.

అమ్మే ఆలోచన ఉన్నవాళ్ళు ఎడిటర్ పదవి వదలడానికీ అమ్మకానికీ మధ్య ఉన్న ఆ ఆరున్నరేళ్ళ వ్యవధిని పట్టించుకోండి. యజమాని ఎడిటర్ కుర్చీ దిగినా సైటు నడుస్తుందని రుజువయ్యాకే అమ్మకం జరిగింది. మన దగ్గర కొనేవాళ్ళు వచ్చేది ఎన్నికల ముందు. యజమానే ఎడిటరు, ఆయనే విలేఖరి, పాస్‌వర్డులన్నీ ఆయన ఫోన్‌లోనే. అలాంటి సైటులో కొనడానికి ఏముంది? కుండబద్దలు కొట్టినట్టు చెప్పాలంటే, చాలాసార్లు కొనేది పాత వార్తల్ని మాయం చేసే హక్కుని. కాబట్టి ఒప్పందంలో రెండు వాక్యాలు తప్పక పెట్టించండి. ప్రచురించిన వార్తని ఎడిటర్ రాతపూర్వక అంగీకారం లేకుండా తీయకూడదు. ఎడిటర్‌ని ఫలానా కాలం లోపు మార్చకూడదు. వీటికి ఒప్పుకోనివాడు దేనికొచ్చాడో అక్కడే తెలిసిపోతుంది. కొనేది విదేశీ సంస్థయితే ఇంకో గీత ఉంది: డిజిటల్ వార్తల్లో విదేశీ పెట్టుబడి 26 శాతం దాటకూడదు, అదీ కేంద్రం అనుమతితోనే.

అమ్మితే కష్టాలు తీరతాయనీ కాదు. 2024 అక్టోబరులో 'ఉక్రయిన్‌స్కా ప్రావ్దా' ఒక బహిరంగ ప్రకటన చేసింది. తమతో ప్రకటనల ఒప్పందాలు మానుకోవాలని వ్యాపార సంస్థల మీద అధ్యక్షుడి కార్యాలయం నుంచి ఒత్తిడి వస్తోందన్నది అందులో ఒక ఆరోపణ. పెద్ద పెట్టుబడిదారు వెనకున్న సైటుకే ఆ బాధ ఉంటే, నాలుగు రియల్ ఎస్టేట్ బ్యానర్ల మీద బతికే సైటు సంగతి వేరే చెప్పాలా? అదే ఊళ్ళో 2021 నవంబరులో, 'కీవ్ పోస్ట్' పత్రిక యజమాని ఉన్నట్టుండి తీసేసిన జర్నలిస్టులు కలిసి పెట్టుకున్న 'కీవ్ ఇండిపెండెంట్' పాఠకుల చందాల మీద నిలదొక్కుకుంది. వార్తలకి తాళం వేయలేదు, ఎవరైనా ఉచితంగా చదవొచ్చు. మన సైట్లకి ఈ పద్ధతే నయమని మా అభిప్రాయం. నెలనెలా వసూలుకి యూపీఐ ఆటోపే పెట్టిస్తాం. 15,000 రూపాయల లోపు మొత్తానికి ప్రతి నెలా మళ్ళీ పిన్ అడగదు, డబ్బు కోసే 24 గంటల ముందు చందాదారుకి సందేశం వెళ్తుంది. చాలామంది రద్దు చేసుకునేది ఆ సందేశం చూసే. దానికి ముందురోజు ఆ నెలలో మీరు తెచ్చిన మంచి వార్త ఒకటి వాళ్ళకి పంపండి.

ఇక మా సంగతులు.

డొమైన్లు మా పేరు మీద రిజిస్టర్ చేసే పద్ధతి ఆపేస్తున్నాం. ఇప్పటికే అలా ఉన్నవాటిని మీ పేరుకి ఉచితంగా మారుస్తాం. డాట్ కామ్‌కి యజమాని పేరు మారితే మామూలుగా 60 రోజులు వేరే రిజిస్ట్రార్‌కి (డొమైన్లు నమోదు చేసే సంస్థకి) తీసుకెళ్ళనివ్వరు, కాబట్టి అమ్మకం మాటలు మొదలయ్యాక కాదు, ఇప్పుడే చేయించుకోండి. మీ మేనల్లుడి జీమెయిల్‌తో కొన్న డొమైనుంటే అదీ మార్చండి. గడువు తీరిన డాట్ కామ్ కొన్నాళ్ళు మామూలు రేటుకే దొరుకుతుంది, ఆ తర్వాతి 30 రోజులు భారీ జరిమానా కట్టాలి, ఆపైన ఎవరైనా ఎగరేసుకుపోవచ్చు.

సైటు చేతులు మారితే యాడ్‌సెన్స్ (గూగుల్ ప్రకటనల) ఖాతా మారదు, దాన్ని బదిలీ చేయడం కుదరదు. కొత్త యజమాని సొంత ఖాతా తెరిచి, కోడూ యాడ్స్ టెక్స్ట్ ఫైల్లోని నంబరూ మార్చుకోవాలి. యూట్యూబ్ ఛానల్‌కి కొత్త మనిషిని ఓనర్‌గా చేర్చి 7 రోజులు ఆగితేనే ప్రధాన ఓనర్‌గా మార్చనిస్తుంది. వర్డ్‌ప్రెస్‌లో డేటాబేస్ ఒక్కటే తీసుకెళ్తే ఫొటోలన్నీ పోతాయి, అప్‌లోడ్స్ ఫోల్డరు కూడా కావాలి. డీటీపీకి వాడే అను ఫాంట్లలో టైపు చేసిన పాత వార్తలు యూనికోడ్‌కి మార్చనిదే గూగుల్‌కి కనబడవు. మార్పిడిలో వత్తులు తారుమారవుతాయి, ఒక మనిషి కూర్చుని చూడాలి. ఆ పనికి విడిగా తీసుకుంటాం.

సైటుని పడగొట్టడానికి చేసే దాడుల విషయం. వాటిని ముందే అడ్డుకునే క్లౌడ్‌ఫ్లేర్ సేవ పెట్టాం కదా అని నిశ్చింతగా ఉండొద్దు. మెయిల్ అదే సర్వర్‌లో ఉంటే దాని రికార్డు ద్వారా సర్వర్ అసలు ఐపీ చిరునామా బయటపడుతుంది. మెయిల్‌ని వేరే చోటికి మార్చి, సర్వర్‌కి కొత్త ఐపీ తీసుకుని, క్లౌడ్‌ఫ్లేర్ నుంచి వచ్చేవాటిని మాత్రమే రానిచ్చేలా ఫైర్‌వాల్ బిగిస్తున్నాం. ఇలాంటి దాడుల్ని ఆపే గూగుల్ వాళ్ళ ప్రాజెక్ట్ షీల్డ్ వార్తా సైట్లకి ఉచితం, 2022లో యుద్ధం మొదలైన కొద్ది రోజులకి ఉక్రెయిన్‌లో 150కి పైగా సైట్లు దాని కింద ఉన్నాయి. మీకు కావాలంటే దరఖాస్తు మేం పెడతాం, ఒప్పుకోవడం మానడం గూగుల్ ఇష్టం.

చిన్న ప్లాన్ నెలకు 900 నుంచి 1,150 అవుతుంది, పెద్దది 2,400 నుంచి 2,900. పెరిగినదంతా బ్యాకప్‌కే. డేటాబేస్ రోజూ, ఫొటోలు వారానికోసారి, 30 రోజుల కాపీలు, రెండో కాపీ వేరే నగరంలో. ఏడాది డబ్బు ముందే కట్టినవాళ్ళకి గడువు దాకా పాత రేటే.

సైట్లు కొనేవాళ్ళు కమీషన్ ఇస్తామని మా దగ్గరికీ వస్తున్నారు. మేం మధ్యవర్తిత్వం చేయం, మీ పాఠకుల లెక్కలు ఎవరికీ చూపించం. డొమైన్ ఎవరి పేరు మీద ఉందో తెలియనివాళ్ళు సైటు పేరు మాత్రం వాట్సాప్ చేయండి, చూసి చెప్తాం.